మూడు ఎపిసోడ్ల గ్రౌటీ: పీటర్ వాన్‌ను విలన్ అంటే సరిపోతుందా?

‘గేమ్ ఆఫ్ థ్రోన్స్’ చూసిన తెలుగువాళ్లకు మేస్టర్ ఏమన్ గుర్తుండే ఉంటాడు. మంచుగోడ దగ్గరి కోటలో ఉండే, చూపులేని నూరేళ్ల వృద్ధుడు. ఆ సిరీస్ 2011లో మొదలయ్యేనాటికి ఆ వేషం కట్టిన పీటర్ వాన్‌కు 88 ఏళ్లు. ఆయనకు నిజంగానే చూపు చాలావరకు తగ్గిపోయింది. బ్రిటన్‌లో మాత్రం అప్పటికి ముప్పై ఏళ్లకు పైగా జనం ఆయన్ను ‘గ్రౌటీ’గానే గుర్తుపడుతున్నారు. బీబీసీ జైలు కామెడీ ‘పారిడ్జ్’లో ఖైదీల మీద పెత్తనం చేసే హ్యారీ గ్రౌట్ పాత్ర అది. 1979లో వచ్చిన సినిమాను పక్కన పెడితే, టీవీలో ఆ పాత్ర కనిపించింది మూడే మూడు ఎపిసోడ్లలో.

2016 డిసెంబరులో 93వ ఏట ఆయన చనిపోయాడు. ఇప్పటికీ వాన్ అనగానే ‘విలన్’ అనేయడం పరిపాటి. అది సగమే నిజం. నటజీవితం మొదటి సగంలో ఆయన అధికారం చేతిలో ఉన్నవాళ్లను ఆడించాడు, రెండో సగంలో ఆ అధికారం జారిపోతున్న ముసలివాళ్లను. రెండింటికీ వాడిన పనిముట్టు ఒకటే: కదలకుండా నిలబడటం, గొంతు పెంచకపోవడం. ముందు భయపెట్టిందీ, తర్వాత జాలి పుట్టించిందీ అదే.

గ్రౌట్ సంగతి కాస్త దగ్గరగా చూద్దాం. రచయితలు డిక్ క్లెమెంట్, ఇయాన్ లా ఫ్రెనే. నాయకుడు ఫ్లెచర్‌గా రోనీ బార్కర్. ఫ్లెచర్‌కి ఎవరన్నా లెక్కలేదు, కఠినుడైన వార్డరు మెకేకి కూడా మాటకు మాట అప్పజెబుతాడు. అలాంటివాడు గ్రౌట్ గదిలోకి అడుగుపెట్టగానే మాటలు తూచి తూచి వాడతాడు. గ్రౌట్ బెదిరించడు. రమ్మంటాడు, కుశలం అడుగుతాడు, తర్వాత చిన్న సాయం అడుగుతున్నట్టే పని పురమాయిస్తాడు. 1975 నాటి ఒక ఎపిసోడ్‌లో ఆ పని ఫ్లెచర్ తోటి ఖైదీ గాడ్బర్‌ను బాక్సింగ్ పోటీలో కావాలని ఓడిపొమ్మనడం. అదే ఏడాది క్రిస్మస్ ప్రత్యేక ఎపిసోడ్‌లో ఒక ఖైదీని తప్పించడానికి సొరంగం. తవ్వుతున్న చప్పుడు బయటికి వినిపించకుండా పైన క్రిస్మస్ పాటలు పాడిస్తారు. 1977లో మాయమైన మాత్రల గొడవ. మూడు చోట్లా గ్రౌట్ చేతికి మట్టి అంటదు.

అప్పటి సిట్‌కామ్ (ఇలాంటి టీవీ కామెడీ సిరీస్) తయారయ్యే పద్ధతి తెలిస్తే ఇందులో కష్టం అర్థమవుతుంది. వారమంతా రిహార్సల్, ఆపైన ఒక సాయంత్రం స్టూడియోలో ప్రేక్షకుల ముందు రికార్డింగ్. కెమెరాలు అనేకం, ఎటు నుంచి ఎటు మారాలో ముందే రాసిపెట్టుకుంటారు. నటుడు నేల మీద తనకు పెట్టిన గుర్తు దాటి అడుగు పక్కకు వేస్తే క్లోజప్ చెడుతుంది, లేదా మైకు నీడ ముఖం మీద పడుతుంది. ఎదురుగా కూర్చున్న జనం నవ్వుతుంటే గొంతు పెంచాలనీ, ముఖం ఆడించి ఇంకో నవ్వు రాబట్టాలనీ అనిపించడం సహజం. వాన్ తన వాక్యాల మీద నవ్వు కోరుకోలేదు. నవ్వంతా బార్కర్ ముఖం మీదికి వదిలేశాడు. భయం గ్రౌట్‌ది, హాస్యం ఫ్లెచర్‌ది. ఈ పంపకం కుదరకపోతే గ్రౌట్ మామూలు రౌడీగా మిగిలేవాడు. యాదృచ్ఛికమే కావచ్చు, మన ‘ముత్యాల ముగ్గు’లో రావు గోపాలరావు కాంట్రాక్టరు వేషంలో గొంతు పెంచకుండా హడలెత్తించిందీ ఆ 1975లోనే.

ఈ పొదుపు ఆయనకు ఎక్కడ అబ్బింది? 1923లో ష్రాప్‌షైర్‌లోని వెమ్ అనే చిన్న ఊళ్లో పుట్టాడు. అసలు పేరు పీటర్ ఓమ్. వుల్వర్‌హాంప్టన్‌లో రెపర్టరీ నాటక బృందంలో చేరాడు, యుద్ధకాలంలో సైన్యం సిగ్నల్స్ విభాగంలో పనిచేశాడు, యుద్ధం ముగిశాక మళ్లీ రంగస్థలానికే వచ్చాడు. వారానికో నాటకం వేసే రెపర్టరీలో పగలు వచ్చే వారం నాటకం రిహార్సల్, రాత్రి ఈ వారం నాటకం ప్రదర్శన. పాఠం బట్టీ పట్టడానికే సమయం చాలదు. అందుకే చాలామంది నటులు ముసలివాడికొక దగ్గు, దొరకి ఒక గొంతు, తాగుబోతుకి ఒక తూలుడు అని సిద్ధం చేసి పెట్టుకునేవాళ్లు. రంగస్థలం మీద చెల్లిపోయే ఆ సరుకు కెమెరా ముందు వెంటనే దొరికిపోతుంది. వాన్ అందులోంచి వేగం, క్రమశిక్షణ తీసుకుని ఆ సరుకును అక్కడే వదిలేసి వచ్చాడు.

1964లో నాటక రచయిత జో ఆర్టన్ తొలి రంగస్థల విజయం ‘ఎంటర్టైనింగ్ మిస్టర్ స్లోన్’ మొదటి ప్రదర్శనలో ఎడ్ పాత్ర ఆయనదే. 1969లో లండన్ వీకెండ్ టెలివిజన్ 13 భాగాల ‘ద గోల్డ్ రాబర్స్’లో ప్రధాన పోలీసు అధికారి. అంటే నాయకపాత్రలు అసలు రాలేదని కాదు, అవి ఆయన పేరుకు అతుక్కోలేదు.

అన్నింటిలోకీ తక్కువ అంచనా వేసిన పని 1972 క్రిస్మస్‌కి బీబీసీ వేసిన దెయ్యం కథ ‘ఎ వార్నింగ్ టు ద క్యూరియస్’ అని నా అభిప్రాయం. ఎం. ఆర్. జేమ్స్ మూలకథలో ప్రధాన పాత్ర పాక్స్‌టన్ యువకుడు. దర్శకుడు లారెన్స్ గోర్డన్ క్లార్క్ ఆ పాత్రను నడివయసులో ఉద్యోగం పోగొట్టుకున్న గుమాస్తాగా మార్చి వాన్‌కి ఇచ్చాడు. దాంతో కథకు ఆయువుపట్టే మారిపోయింది. యువకుడు పాత కిరీటం కోసం తవ్వితే అది కుతూహలం. కొలువు పోయిన గుమాస్తా తవ్వితే, తనూ ఒక మనిషినేనని రుజువు చేసుకునే ఆఖరి ప్రయత్నం. నార్ఫోక్ తీరంలో, చెట్ల మధ్య, మాటలు బహు తక్కువ. గ్రౌట్‌లో బరువుగా కనిపించిన ఆ శరీరమే ఇక్కడ ఎవరో వెంటపడుతున్నారన్న స్పృహతో ముడుచుకుపోతుంది. ‘విలన్’ ముద్ర ఎంత పొరపాటో గ్రౌట్ పుట్టకముందే ఇది తేల్చేసింది.

తర్వాతి తండ్రుల పాత్రలకు బీజం ఇక్కడే పడింది. ఇస్మాయిల్ మర్చంట్ నిర్మాతల్లో ఒకరైన ‘ద రిమెయిన్స్ ఆఫ్ ద డే’ (1993)లో ఆంథోనీ హాప్కిన్స్‌కి తండ్రిగా వేశాడు. ఇద్దరికీ వయసు తేడా 14 ఏళ్లే. బట్లర్ వృత్తిలో పండిపోయిన ఆ ముసలాయన పళ్లెంతో నడుస్తూ పడిపోతాడు. పడటం ఎవరైనా నటిస్తారు. వాన్ చూపించింది పడేముందు నడక: తొట్రుపాటును దాచడానికి పడే పాట్లన్నీ ఆ బిగుసుకున్న వీపులోనే ఉంటాయి.

1996లో టీవీ సీరియల్ ‘అవర్ ఫ్రెండ్స్ ఇన్ ద నార్త్’. న్యూకాజిల్ నేపథ్యంలో 1964 నుంచి 1995 దాకా సాగే తొమ్మిది భాగాలు. వాన్ వేసిన తండ్రి పాత్ర ఫీలిక్స్ హచిన్సన్ 1936 నాటి జారో నిరుద్యోగ యాత్రలో నడిచినవాడు, రాజకీయాల మీద నమ్మకం చచ్చినవాడు, చివరికి అల్జీమర్స్ బారిన పడతాడు. ఈ జబ్బు నటించేవాళ్లు చేసే పొరపాటు చేతులు వణికించడం, చూపు అటూ ఇటూ తిప్పడం. ఫీలిక్స్‌లో మొండితనం అలాగే ఉంటుంది, దేని మీద మొండికెత్తాడో అదే మర్చిపోతాడు. కొడుకు అడగదలచుకున్న ప్రశ్నలకు జవాబు చెప్పగల మనిషి అప్పటికే లేడు.

ఏమన్ విషయంలోనూ అంతే. చూపులేని పాత్రల్లో సాధారణంగా దొర్లే తప్పు, మాట వినపడగానే ఎదుటివాడి కళ్లలోకి చూసేయడం. వాన్ చెవి మాత్రం మాటవైపు పెట్టి ముఖాన్ని తనలోకే తిప్పుకుంటాడు.

ఇలాంటి నటజీవితం సాధ్యమైంది వ్యక్తిగత ప్రతిభ వల్ల మాత్రమే కాదు. బీబీసీ సొంతంగా నాటకాలు తీసేది, ప్రైవేటు చానల్ ఐటీవీ ప్రాంతీయ కంపెనీలు పోటీపడి సీరియల్స్ తీసేవి. అతిథి పాత్రలకు కొదవ ఉండేది కాదు. అయితే ఆ వ్యవస్థకు ఇంకో ముఖమూ ఉంది. ‘సిటిజన్ స్మిత్’ అనే కామెడీలో హీరో ప్రియురాలి తండ్రిగా వాన్ రెండు సిరీస్‌లు చేసి తప్పుకుంటే, అదే పాత్రకు మరో నటుణ్ని పెట్టి షో నడిపించేశారు, ఆగలేదు. చిరాకుపడే తండ్రి ప్రతివారం ఒకే పని చేస్తాడు గనుక మనిషి మారినా పని సాగిపోతుంది. గ్రౌట్‌ను అలా మార్చడం కుదిరేది కాదు. ఆయన తెరమీద లేని ఎపిసోడ్లలో కూడా ఆ జైలు ఎవరి చెప్పుచేతల్లో ఉందో ప్రేక్షకుడికి తెలుసు.

కొత్తగా చూసేవాళ్లు బాక్సింగ్ ఎపిసోడ్ ‘ద హార్డర్ దే ఫాల్’తో మొదలుపెట్టవచ్చు, అరగంటే. ఆ వెంటనే పాక్స్‌టన్ దెయ్యం కథ, అది 50 నిమిషాలు. ‘స్ట్రా డాగ్స్’ (1971) మాత్రం చివరికి ఉంచుకోండి. హింస మోతాదు మించిన సినిమా అది, ముందే చూస్తే ఆయన మీద విలన్ ముద్రే పడిపోతుంది.