శనివారం మూడింటి మ్యాచ్‌కి రేడియో పెట్టండి, స్టిక్ కొనకండి

ఇంగ్లండ్‌కి కొత్తగా వచ్చిన మనవాళ్ళకి మొదటి సీజన్‌లోనే ఒక షాక్ తగులుతుంది. శనివారం మధ్యాహ్నం మూడింటికి మొదలయ్యే ఫుట్‌బాల్ మ్యాచ్ ఇక్కడ ఏ టీవీలోనూ లైవ్ రాదు. స్కై ఉన్నా రాదు, టీఎన్‌టీ ఉన్నా రాదు, ఎంత డబ్బు కట్టినా రాదు. అదే మ్యాచ్‌ని కూకట్‌పల్లిలో మా బావ సోఫాలో కూర్చుని చూస్తుంటాడు. చలికాలంలో వాళ్ళకప్పుడు రాత్రి ఎనిమిదిన్నర, వేసవిలో ఇక్కడ గడియారాలు మార్చాక ఏడున్నర. హాయిగా అన్నం తింటూ చూస్తాడు. చూసి ఊరుకుంటాడా? గోల్ పడగానే వాయిస్ మెసేజ్. "ఏంది బావా, స్టేడియం పక్కనే ఉండి కూడా చూస్తలేవా?"

చూస్తలేను. వింటున్నాను. దాని గురించే ఈ పోస్టు. కాస్త పొడుగే, ఓపిక ఉన్నవాళ్ళు చదవండి.

ఈ కట్టడి ఇప్పటిది కాదు. 1960లలో బర్న్‌లీ క్లబ్ చైర్మన్ బాబ్ లార్డ్ పట్టుబట్టి తెచ్చినది. పెద్ద జట్ల ఆట ఇంట్లో కూర్చుంటే కనిపించేటప్పుడు చిన్న ఊళ్ళ క్లబ్బులకి టికెట్ కొని ఎవరూ రారన్నది ఆయన వాదన. తోటి క్లబ్బులు ఒప్పుకున్నాయి. అప్పటి నుంచి మామూలుగా శనివారం 2:45 నుంచి 5:15 దాకా టీవీలో లైవ్ ఫుట్‌బాల్ ఉండదు. యూరప్ ఫుట్‌బాల్ సంఘం యుయెఫా నియమాలు కూడా ఏ దేశమైనా ఇలా రెండున్నర గంటలు పక్కన పెట్టుకోవడానికి వీలిస్తాయి. చాలామంది దీన్ని తిడతారు. నేను తిట్టను. ఐదో డివిజన్, ఆరో డివిజన్ మ్యాచ్‌కి ఒక్కసారి వెళ్ళండి. వానలో తడుస్తూ గేటు దగ్గర టికెట్ చింపే ముసలాయన, టీ అమ్మే ఆవిడ, వాళ్ళ మనవడు, అందరూ ఆ గేటు డబ్బుల మీద నడిచే క్లబ్ మనుషులే. లార్డ్ మాటలో నిజం ఉంది.

నా కోపం లార్డ్ మీద కాదు, స్టిక్ మీద. అదే, టీవీకి గుచ్చి దొంగ స్ట్రీమ్‌లు చూసే ఆ పుల్ల. మన వాట్సాప్ గ్రూపుల్లో ప్రతి ఆగస్టులో ఒకడు తయారవుతాడు. "అన్నా, ఏడాదికి యాభై పౌండ్లే, అన్ని మ్యాచ్‌లూ, మూడింటివి కూడా, తెలుగు చానెళ్ళు ఫ్రీ." మాస్టర్స్ చేయడానికి వచ్చిన పిల్లలు, వీసా మీద ఉన్నవాళ్ళు, బ్యాంకు కార్డు వివరాలు ఎవడో తెలియనివాడి చేతిలో పెడతారు. 2023లో ఇక్కడి కోర్టు ఇలాంటి దొంగ స్ట్రీమ్‌లు నడిపిన ఒక ముఠాకి అందరికీ కలిపి 30 ఏళ్ళకు పైగా జైలు వేసింది. అమ్మినవాడికి జైలు సరే, కొన్నవాడికి దక్కేదేమిటి? పెనాల్టీ కొట్టబోతుండగా చక్రం తిరగడం. అది ఆగి బొమ్మ వచ్చేసరికి ఆటగాళ్ళు సెంటర్‌కి వెళ్తుంటారు. గోల్ పడిందో లేదో వాళ్ళ మొహాలు చూసి కనిపెట్టాలి. దీనికి యాభై పౌండ్లు.

పోనీ పద్ధతిగా కొందామా అంటే, 2025-26 నుంచి నాలుగేళ్ళ ఒప్పందంలో స్కై ఏడాదికి కనీసం 215, టీఎన్‌టీ 52 ప్రీమియర్ లీగ్ మ్యాచ్‌లు చూపిస్తాయి. మొత్తం ఉన్నవి 380. రెండింటికీ కట్టినా వందకు పైగా మ్యాచ్‌లు చేతికి రావు. వాటిలో ఎక్కువ ఆ మూడింటివే. దానికి తోడు లైవ్ టీవీ చూడాలంటే ఏడాదికి 170 పౌండ్ల పైచిలుకు టీవీ లైసెన్సు. రేడియోకి లైసెన్సు 1971లోనే ఎత్తేశారు. పైసా ఖర్చు లేదు.

"రేడియోలో ఫుట్‌బాల్ ఏం అర్థమవుతుంది? క్రికెట్ అంటే సరే, బంతికీ బంతికీ మధ్య టైమ్ ఉంటుంది." ఇది ప్రతిసారీ వినే మాట. 1927లో బీబీసీ వాళ్ళకీ ఇదే అనుమానం. ఆ ఏడాది జనవరి 22న హైబరీలో ఆర్సెనల్, షెఫీల్డ్ యునైటెడ్ ఆడిన మ్యాచ్‌ని ఇక్కడ మొదటిసారి రేడియోలో లైవ్‌గా చెప్పారు. జనానికి అర్థం కావాలని రేడియో టైమ్స్ పత్రికలో మైదానం బొమ్మ వేసి, ఎనిమిది గడులుగా విడదీసి, నంబర్లు వేశారు. టెడ్డీ వేక్లమ్ ఆట చెబుతుంటే పక్కన ఇంకొకాయన బంతి ఏ గడిలో ఉందో నంబరు చెప్పేవాడు. ఇంట్లో పత్రిక ఒళ్ళో పెట్టుకుని వేలితో బంతి వెంట పడాలన్నమాట. మ్యాచ్ 1-1. కొన్నేళ్ళకి గడులు పోయాయి, కామెంటరీ మిగిలింది. నంబర్లు చెప్పకుండానే బంతి ఎక్కడుందో చూపించే మాట తీరు వాళ్ళకి పట్టుబడింది.

ఆ తీరు ఎలా ఉంటుందో శ్రద్ధగా వింటే తెలుస్తుంది. టీవీ కామెంటేటర్ నోరు మూసుకున్నా నడుస్తుంది, బొమ్మ ఉంది కాబట్టి. రేడియో ఆయనకి ఆ సుఖం లేదు. ఎవరు ఎడమ నుంచి కుడికి ఆడుతున్నారు, బంతి గీతకి ఎంత దూరంలో ఉంది, డిఫెండర్ ముందుకొచ్చాడా వెనక్కి తగ్గాడా, ఇవన్నీ చెబుతూనే ఇప్పుడే రేడియో పెట్టినవాడి కోసం స్కోరూ నిమిషమూ మళ్ళీ మళ్ళీ చెప్పాలి. మంచి కామెంటేటర్ గొంతు బంతి మైదానం మధ్యలో ఉన్నప్పుడు కింద ఉంటుంది, పెనాల్టీ బాక్స్ దగ్గరికి వచ్చేకొద్దీ ఒక్కో మెట్టూ ఎక్కుతుంది. మాటలు పట్టించుకోకపోయినా ఆ గొంతును బట్టి ప్రమాదం ఎంత దగ్గరికొచ్చిందో తెలిసిపోతుంది. ఇంకో సంగతి. రేడియోలో గోల్ ముందు జనంలో పడుతుంది, తర్వాతే కామెంటేటర్ నోట్లో పడుతుంది. ఆయన ఆటగాడి పేరు పూర్తి చేసేలోపే వెనకాల హోరు లేస్తుంది. ఆ హోరు మన జట్టు వాళ్ళదా, అవతలి వాళ్ళదా? ఆ అర సెకను టెన్షన్ ఏ టీవీలోనూ లేదు.

నాకది ఎక్కువగా బెల్‌గ్రేవ్ రోడ్డు మీద, కారులో జరుగుతుంది. మేముండేది లెస్టర్‌లో. శనివారం మధ్యాహ్నం కూరగాయల పని. మా ఆవిడ మెంతికూర, దొండకాయలు చూసుకుంటూ ఉంటే నేను పార్కింగ్‌లో 104.9 పెట్టుకుని కూర్చుంటాను. బీబీసీ రేడియో లెస్టర్. 1967 నవంబర్‌లో మొదలైంది, బీబీసీ స్థానిక రేడియోల్లో మొట్టమొదటిది ఇదే. లెస్టర్ సిటీ మ్యాచ్‌ని ఊరి మనిషిలా చెబుతారు. ఎంత ఊరి మనిషిలా అంటే, జట్టు చెత్తగా ఆడుతుంటే కామెంటేటర్ నిట్టూర్పు కూడా మైకులో పడుతుంది. ఆవిడ సంచులతో వచ్చి డిక్కీ తీయమంటుంది. ఇంకా ఆరు నిమిషాలు ఇంజూరీ టైమ్ ఉందంటాను. చుట్టూ చూస్తే ఇంకో రెండు కార్లలో గుజరాతీ పెద్దమనుషులు అదే పనిలో ఉంటారు, అద్దాలు సగం దించి. ముగ్గురి రేడియోలూ ఒకేసారి అరుస్తాయి. 2016లో ఈ జట్టు 5000కి 1 పందెం మీద లీగ్ గెలిచిన సంగతి ఇక్కడ ప్రతి మూడో మనిషీ నిన్న జరిగినట్టు చెబుతాడు.

మూడు కార్లూ ఒకేసారి అరవడానికి కారణం ఉంది. అన్నీ ఎఫ్‌ఎం మీద ఉన్నాయి. దీన్ని చాలామంది పట్టించుకోరు. ఎఫ్‌ఎం, మీడియం వేవ్ దాదాపు అప్పటికప్పుడే వస్తాయి. డీఏబీ అనే డిజిటల్ రేడియో కొన్ని సెకన్లు వెనకబడుతుంది. ఫోన్లో యాప్ అయితే అర నిమిషం, ఒక్కోసారి ఇంకా ఎక్కువ. ఇంట్లో ఫోన్లో వింటుంటే పక్కింటి కేక ముందొస్తుంది, గోల్ తర్వాతొస్తుంది. అందుకే స్టేడియంలో కూర్చుని చెవిలో కామెంటరీ పెట్టుకోవాలనుకునేవాళ్ళు యాప్ జోలికి పోకండి. ప్రీమియర్ లీగ్ పెద్ద మ్యాచ్‌లకి బీబీసీ రేడియో 5 లైవ్, మీడియం వేవ్‌లో 693, 909. టాక్‌స్పోర్ట్ 1053, 1089. మీడియం వేవ్‌లో కరకరలు ఉంటాయి, రాత్రి పూట పరాయి స్టేషన్లు చొరబడతాయి, చాలా ఎలక్ట్రిక్ కార్లలో అసలు పలకదు. టాక్‌స్పోర్ట్‌లో ప్రకటనల గోల ఎక్కువ. నా ఓటు 5 లైవ్‌కే. ఐదింటికి వచ్చే స్పోర్ట్స్ రిపోర్ట్ 1948 నుంచీ ఉంది, బ్యాండు ట్యూన్‌తో సహా. అందులో జేమ్స్ అలెగ్జాండర్ గోర్డన్ అనే ఆయన 1974 నుంచి 2013 దాకా ఫలితాలు చదివాడు. జట్ల పేర్లు పలికిన తీరును బట్టే ఎవరు గెలిచారో ఎవరు ఓడారో తెలిసిపోయేదట. స్కోరు తర్వాత సంగతి. ఆ రికార్డింగులు దొరుకుతాయి, వినండి, నిజమే.

బొమ్మ లేకపోవడం లోటనుకునేవాళ్ళు 1986 జూన్ 22 గుర్తు చేసుకోవాలి. మెక్సికో అజ్టెకా స్టేడియంలో ఇంగ్లండ్ మీద మారడోనా రెండో గోల్. టీవీలో వందసార్లు చూశాం. కానీ ఆ గోల్ అర్జెంటీనావాళ్ళ నోట్లో ఇప్పటికీ ఉన్నది రేడియో కామెంటేటర్ విక్టర్ ఉగో మొరాలెస్ గొంతుతో. ఏడుస్తూ, దేవుడికి దండం పెడుతూ, నువ్వే గ్రహం నుంచి వచ్చావని అడిగి, మారడోనాని విశ్వంలో ఎగిరే గాలిపటం అన్నాడు. బీబీసీ రేడియోలో అదే గోల్‌కి బ్రయన్ బట్లర్ మారడోనాని మెలికలు తిరిగే పాము చేపతో పోల్చాడు, గోల్ తిన్నది తన దేశమే అయినా. ఒకే గోల్, ఇద్దరు మనుషులు, రెండు గోల్స్.

ఇక నాకు ఒళ్ళు మండే విషయం. సెలవులకి హైదరాబాద్ వెళ్ళి ఇక్కడ రోజూ వినే యాప్ తెరిస్తే, మీ ప్రాంతంలో ఈ కార్యక్రమం అందుబాటులో లేదంటుంది. వార్తలైతే వస్తాయి, మ్యాచ్ మొదలుకాగానే గప్‌చుప్. కారణం హక్కులు. టీవీ హక్కుల్లాగే ఆడియో హక్కుల్నీ దేశాలవారీగా విడివిడిగా అమ్ముతారు. ఇంగ్లండ్‌లో వినిపించే హక్కు ఒకరిది, ఇండియాలో ఇంకొకరిది. అంటే ఇంగ్లండ్‌లో చూడటానికి లేదు, ఇండియాలో వినడానికి లేదు. కళ్ళు అక్కడ, చెవులు ఇక్కడ. దీనికి నాకు దొరికిన దారి క్లబ్బుల సొంత యాప్‌లు. పెద్ద క్లబ్బులు చాలావరకు తమ మ్యాచ్‌లకి ఆడియో కామెంటరీ ఇస్తాయి, కొన్ని ఉచితంగా, కొన్ని సభ్యులకి. ఒక్క హెచ్చరిక. అక్కడ చెప్పేవాళ్ళు ఆ క్లబ్ జీతం తినేవాళ్ళు. తమ జట్టు మీద పెనాల్టీ ఇస్తే రిఫరీకి ఎప్పుడూ కళ్ళు కనిపించవు. అది తెలిసి వింటే సరదాగానే ఉంటుంది.

ఇండియా అన్నాను కాబట్టి మన సంగతి కూడా అనేస్తాను. కోల్‌కతాలో ఒక తరం మొత్తం ఆకాశవాణిలో అజయ్ బసు, పుష్పేన్ సర్కార్ బెంగాలీ కామెంటరీ విని ఫుట్‌బాల్ పిచ్చి పెంచుకుంది. మన హైదరాబాద్ ఏమైనా తక్కువదా? భారత జట్టుకి 1956 ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం, 1962 జకార్తా ఆసియా క్రీడల్లో స్వర్ణం, రెండింటికీ కోచ్ మన రహీం సాబ్. హైదరాబాద్ ఎఫ్‌సీ 2022లో ఇండియన్ సూపర్ లీగ్ గెలిచింది, నాలుగేళ్ళు తిరక్కుండానే క్లబ్ మూటాముల్లె సర్దుకుని ఢిల్లీ వెళ్ళిపోయింది. క్రికెట్‌కీ కబడ్డీకీ టీవీలో తెలుగు కామెంటరీ వచ్చేసింది. ఫుట్‌బాల్‌కి రేడియోలో తెలుగు గొంతు ఏదీ?

ప్రైవేట్ ఎఫ్‌ఎంలని అడిగితే రూల్స్ ఒప్పుకోవంటారు. సగం నిజం. 2011 ఎఫ్‌ఎం విధానంలో ఆటల లైవ్ ప్రసారం వద్దన్నారు, కానీ స్థానిక పోటీల లైవ్ కామెంటరీకి వీలుందని అందులోనే రాశారు. స్థానిక లీగ్ మ్యాచ్‌కి ఆ తలుపు తెరిచే ఉంది, ఎవరూ తోయలేదంతే. 2024 డిసెంబర్ 31న గచ్చిబౌలిలో రాష్ట్రాల జట్లు ఆడే సంతోష్ ట్రోఫీ ఫైనల్ జరిగింది. బెంగాల్, కేరళ. ఇంజూరీ టైమ్‌లో రబి హన్స్‌దా ఒక్క గోల్ కొట్టి బెంగాల్‌ని గెలిపించాడు. మన ఊళ్ళో, ఏడాది చివరి రోజు రాత్రి, ఆఖరి నిమిషంలో గోల్. తెలుగులో చెప్పడానికి ఇంతకంటే మ్యాచ్ ఏం కావాలి?

పెద్ద ఖర్చు కూడా కాదు. రెండు మైకులు, ఇద్దరు మనుషులు, ఒక నెట్ కనెక్షన్. ఐపీఎల్ వేలం మీద యూట్యూబ్‌లో గంటలకొద్దీ మాట్లాడే కుర్రాళ్ళలో ఇద్దరు ఒక ఆదివారం స్థానిక లీగ్ మ్యాచ్‌కి వెళ్ళి, బంతి ఎటు పోతోందో చెబితే చాలు. స్కోరు మాత్రం రెండు నిమిషాలకోసారి చెప్పండి బాబూ, మధ్యలో వచ్చి వినేవాళ్ళం ఉంటాం. టైమ్ నాలుగు రోజుల ముందే చెప్పండి. ఇక్కడ నేను షిఫ్ట్ మార్చుకోవాలి.