పీల్చే మందుకు బీమా ఏది?

డెబ్బై ఏళ్లు నిండిన ప్రతి ఒక్కరికీ, ఆదాయంతో సంబంధం లేకుండా, కుటుంబానికి ఏడాదికి 5 లక్షల రూపాయల దాకా ఉచిత వైద్యం అందిస్తామంటూ కేంద్రం 2024 అక్టోబర్ 29న ఆయుష్మాన్ వయ వందన కార్డును తెచ్చింది. ఉన్నవాళ్లా లేనివాళ్లా అని చూడకుండా పెద్దవాళ్లందరికీ ఇచ్చిన హామీ ఇది. మంచి పథకం, అందులో రెండో మాట లేదు. అయితే ఉబ్బసంతో బాధపడే పెద్దాయన ఆ కార్డు పట్టుకుని మెడికల్ షాపుకి వెళ్లి ఇన్‌హేలర్ అడిగితే అది చెల్లదు. జేబులోంచి తీసి కట్టాల్సిందే. కొనలేక మానేసి, ఏ అర్ధరాత్రో ఊపిరాడక 108లో ఆస్పత్రికి చేరితే మాత్రం అదే కార్డు పనికొస్తుంది. మంచం, ఆక్సిజన్, ఐసీయూ అన్నీ ఉచితం. ఆయాసం ముదరకుండా చూసే మందుకు పైసా ఇవ్వని బీమా, ముదిరి మంచాన పడ్డాక వేలకు వేలు కడుతోంది. ఈ పద్ధతి మారాలి.

లెక్క చూడండి. ఉబ్బసానికీ, పొగ వల్ల ఊపిరితిత్తులు దెబ్బతిని వచ్చే సీఓపీడీకీ డాక్టర్లు తరచూ రాసే మందు బుడెసొనైడ్, ఫార్మోటెరాల్ కలిపిన ఇన్‌హేలర్. ఒక్కోదాంట్లో 120 పఫ్‌లు ఉంటాయి. పొద్దున రెండు, రాత్రి రెండు పీలిస్తే సరిగ్గా నెల రోజులు వస్తుంది. బ్రాండును బట్టి సుమారు 400 నుంచి 500 రూపాయలు. ఏడాదికి 5 వేలు, మహా అయితే 6 వేలు. ఇప్పుడు ఆస్పత్రి వైపు లెక్క. 2021 అక్టోబర్‌లో సవరించిన ఆయుష్మాన్ భారత్ ప్యాకేజీ ధరల ప్రకారం వెంటిలేటర్ లేని ఐసీయూకు రోజుకు 8,500 రూపాయలు, వెంటిలేటర్ ఉంటే 9,000. ఒక్క రోజు ఐసీయూకు చెల్లించే సొమ్ముతో ఒక మనిషికి ఏడాది పొడవునా ఇన్‌హేలర్లు ఇవ్వొచ్చు. పైగా స్పేసర్ (మందు తేలిగ్గా పీల్చడానికి ఇన్‌హేలర్‌కు తగిలించే గొట్టం) కొనడానికి కూడా మిగులుతుంది. ఆయాసంతో ఐసీయూలో చేరిన పెద్దవాళ్లు ఒక్క రోజులో ఇంటికి రారన్నది అందరికీ తెలిసిందే.

నెలకు 500 అంటే పెద్ద మొత్తమా అని కొందరు అనొచ్చు. తెలంగాణలో వృద్ధాప్య పింఛను 2,016 రూపాయలు. అందులో నాలుగో వంతు ఈ ఒక్క మందుకే పోతుంది. ఆంధ్రప్రదేశ్‌లో పింఛను 4,000 కాబట్టి కాస్త నయం. కానీ డెబ్బై దాటిన ఒంట్లో ఆయాసం ఒక్కటే ఉండదు కదా. బీపీ, షుగర్, మోకాళ్ల నొప్పులు, కంటి చుక్కలు అన్నీ ఆ పింఛనులోంచే వెళ్లాలి. జబ్బు ఇంకాస్త ముదిరి మూడు మందులు కలిపిన ఇన్‌హేలర్ రాస్తే ఖర్చు దాదాపు రెట్టింపు అవుతుంది.

అందుకే పెద్దవాళ్లు మందును సాగదీస్తారు. రెండు పఫ్‌ల చోట ఒకటి పీలుస్తారు. కాస్త తేలిగ్గా ఉన్న రోజున అసలే మానేస్తారు. ఇన్‌హేలర్ వెనకాల ఉన్న మీటర్ సున్నా చూపించినా, మీటర్ లేనిదైతే చెవి దగ్గర పెట్టి ఊపి చూసుకుని, ఇంకా ఉందనుకుంటూ నొక్కుతూనే ఉంటారు. మందు అయిపోయాక కూడా డబ్బాలోంచి గాలి వస్తూనే ఉంటుంది కాబట్టి పీల్చామనే అనుకుంటారు. ఇంకొందరు డాక్టర్ రాసిన రెండు ఇన్‌హేలర్లలో చవకైనదాన్ని, అంటే అప్పటికప్పుడు ఉపశమనం ఇచ్చే సాల్బుటమాల్‌ను మాత్రమే కొంటారు. నొక్కగానే ఊపిరి ఆడుతుంది కాబట్టి అదే అసలు మందు అనిపిస్తుంది. నిజానికి శ్వాసనాళాల్లో వాపును తగ్గించేది రెండోది. ఉబ్బసానికి సాల్బుటమాల్ ఒక్కదాన్నే వాడటం ప్రమాదమని, అలా వాడొద్దని అంతర్జాతీయ ఆస్తమా నిపుణుల సంస్థ జీనా 2019లోనే తన మార్గదర్శకాలను మార్చుకుంది. మన పల్లెల్లో మెడికల్ షాపు దగ్గర ఇప్పటికీ ఎక్కువగా అడిగేది ఆ ఒక్కదాన్నే.

ఇన్‌హేలర్ అందనప్పుడు దాని స్థానంలోకి వచ్చేవి ఇంకా చేటు చేస్తాయి. ఆయాసం ఎక్కువైన రోజున ఊళ్లో ఆర్‌ఎంపీ దగ్గర డెరిఫిలిన్, స్టెరాయిడ్ ఇంజెక్షన్ వేయించుకోవడం మనకు మామూలైపోయింది. ఆ పూటకి హాయిగా ఉంటుంది. పదే పదే వేయించుకుంటే షుగర్ పెరుగుతుంది, ఎముకలు గుల్లబారతాయి. ఇన్‌హేలర్ ద్వారా ఊపిరితిత్తుల్లోకి నేరుగా వెళ్లే స్టెరాయిడ్ మోతాదు చాలా తక్కువ, ఒళ్లంతటికీ పాకేది ఇంకా తక్కువ. అయినా ‘ఇన్‌హేలర్ అలవాటైతే ఇక మానలేం’, ‘అది ఆఖరి దశలో వాడేది’ అన్న భయం మన ఇళ్లలో ఎంత బలంగా ఉందంటే, కొనే స్తోమత ఉన్న పిల్లలు కూడా ‘అప్పుడే వద్దులే నాన్నా’ అంటుంటారు. ఈ అపోహను పోగొట్టాల్సిన బాధ్యత డాక్టర్లదే కాదు, మా లాంటి పత్రికలది కూడా.

ఏటా మృగశిర కార్తె రాగానే హైదరాబాద్ నాంపల్లి ఎగ్జిబిషన్ గ్రౌండ్స్‌లో చేప ప్రసాదం కోసం జనం ఎక్కడెక్కడి నుంచో వస్తారు. ప్రభుత్వ శాఖలు కొరమీను పిల్లలు సమకూరుస్తాయి, బారికేడ్లు కడతాయి, మంచినీళ్లు, బందోబస్తు చూస్తాయి. ఆ ప్రసాదం ఉబ్బసాన్ని తగ్గిస్తుందనడానికి శాస్త్రీయ ఆధారం లేదు, ఆ మాట డాక్టర్లు ఏళ్ల తరబడి చెబుతూనే ఉన్నారు. అక్కడికి వచ్చేవాళ్లను మేం తప్పుపట్టం. రాత్రంతా కూర్చుని ఊపిరి పీల్చుకునే మనిషికి ఎక్కడ ఆశ కనిపిస్తే అక్కడికి వెళ్తాడు. అంత జనానికి ఆ రెండు రోజులు ఏర్పాట్లు చేయగలిగిన యంత్రాంగం, పనిచేస్తుందని రుజువైన మందును వాళ్ల ఊరి ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో ఏడాది పొడవునా ఎందుకు ఇవ్వలేకపోతోందన్నదే మా ప్రశ్న.

ప్రపంచంలోని ఉబ్బసం రోగుల్లో సుమారు 13 శాతం మంది మన దేశంలో ఉన్నారు. ఉబ్బసం మరణాల్లో మాత్రం మన వాటా 40 శాతం పైనే. ఈ తేడాకు కారణం మందు కనిపెట్టకపోవడం కాదు. నొక్కి పీల్చే ఇన్‌హేలర్ 1956లోనే వచ్చింది. తయారీ తెలియకా కాదు. అమెరికాలో సాల్బుటమాల్ ఇన్‌హేలర్ జెనెరిక్‌కు సిప్లా 2020లో, సీఓపీడీకి వాడే టియోట్రోపియం పీల్చే పొడికి లుపిన్ 2023లో అక్కడి ఎఫ్‌డీఏ అనుమతి తెచ్చుకున్నాయి. అమెరికా ముసలివాళ్లకు మందు పంపగలిగిన దేశం సొంత ముసలివాళ్లకు ఇవ్వలేకపోవడం బాధాకరం.

పథకాల నిర్మాణంలోనే లోపం ఉంది. ఆయుష్మాన్ భారత్‌లో ఆస్పత్రిలో చేరడానికి 3 రోజుల ముందు, డిశ్చార్జి అయ్యాక 15 రోజుల వరకే మందుల ఖర్చు వర్తిస్తుంది. ఔట్ పేషెంట్‌గా రోజూ వాడే మందులకు చోటు లేదు. 2007 ఏప్రిల్ 1న ఉమ్మడి రాష్ట్రంలో మహబూబ్‌నగర్, అనంతపురం, శ్రీకాకుళం జిల్లాల్లో మొదలైన ఆరోగ్యశ్రీ కూడా పెద్ద ఆపరేషన్లు, ఖరీదైన చికిత్సల కోసం పుట్టిన పథకమే. గుండె ఆపరేషన్‌కు పొలం అమ్ముకునే దుస్థితి నుంచి అది లక్షల కుటుంబాలను కాపాడింది. ఆ మేలు మరిచిపోలేం. ఆయాసం లాంటి జబ్బు కుటుంబాన్ని ఒక్కసారిగా కూల్చదు, నెలనెలా కొద్దికొద్దిగా తీసుకుపోతుంది. అందుకే అది పథకాల కంటికి ఆనలేదు. దేశంలో మొత్తం ఆరోగ్య వ్యయంలో జనం నేరుగా జేబులోంచి పెట్టేది 2021-22 లెక్కల ప్రకారం 39.4 శాతం. 2014-15లో అది 62.6 శాతం ఉండేది. తగ్గడం సంతోషమే, మిగిలిన భారంలో పెద్ద ముక్క రోజువారీ మందులదే.

ప్రైవేటు బీమా తీసుకున్నవాళ్ల పరిస్థితీ అంతంతమాత్రమే. ఇంట్లోనే ఉంచి చేసే చికిత్సకు ఖర్చు ఇస్తామనే క్లాజు చాలా మెడిక్లెయిమ్ పాలసీల్లో ఉంటుంది. దాని కిందే ఏ జబ్బులకు వర్తించదో చిన్న అక్షరాల్లో జాబితా ఉంటుంది. ఆ జాబితాలో ఉబ్బసం, బ్రాంకైటిస్ తరచూ కనిపిస్తాయి. ముందు నుంచీ జబ్బు ఉంటే, దానికి బీమా వర్తించేదాకా ఆగాల్సిన వెయిటింగ్ పీరియడ్ సరేసరి. బీమా నియంత్రణ సంస్థ ఐఆర్‌డీఏఐ 2024లో దాన్ని 48 నెలల నుంచి 36 నెలలకు తగ్గించింది, 65 ఏళ్లు దాటినవాళ్లకు కొత్త పాలసీ ఇవ్వడానికి ఉన్న అడ్డును తొలగించింది. 2025 జనవరిలో సీనియర్ సిటిజన్ల ప్రీమియాన్ని ముందుగా తనతో సంప్రదించకుండా ఏడాదికి 10 శాతం మించి పెంచొద్దని ఆదేశించింది. 2025 సెప్టెంబర్ 22 నుంచి వ్యక్తిగత ఆరోగ్య బీమాపై జీఎస్టీ పోయింది. ఇవన్నీ ఆహ్వానించదగ్గవే. కానీ పాలసీ చేతికి రావడం తేలికైంది తప్ప, అందులో ఇన్‌హేలర్ మాత్రం ఇంకా లేదు. పాఠకులకు ఒక మాట: ఆరోగ్య సంజీవని లాంటి పాలసీల్లో డిశ్చార్జి తర్వాత 60 రోజుల దాకా మందుల బిల్లులు క్లెయిమ్ చేసుకోవచ్చు. ఆ రెండు నెలల ఇన్‌హేలర్ బిల్లులు పారేయకండి. చాలామంది ఈ సంగతి తెలియక వదిలేస్తున్నారు.

ఔట్ పేషెంట్ మందులు బీమాలో పెడితే ఖజానా తట్టుకోదన్న వాదన ఎప్పుడూ వినిపిస్తుంది. ఈ దేశంలోనే కొందరికి అది దశాబ్దాలుగా అందుతోంది. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగం చేసి రిటైరైనవాళ్లు సీజీహెచ్‌ఎస్ వెల్‌నెస్ సెంటర్‌కు వెళ్లి నెలకు సరిపడా మందులు తెచ్చుకుంటారు, ఇన్‌హేలర్ కూడా. మాజీ సైనికులకు ఈసీహెచ్‌ఎస్ ఉంది. ఐదేళ్లు పైగా ఈఎస్‌ఐ కట్టి రిటైరైన కార్మికులు ఏడాదికి 120 రూపాయలు కట్టి ఆ వైద్యం కొనసాగించుకోవచ్చు. వాళ్లకు ఇవ్వడం న్యాయమే. మరి జీవితమంతా కట్టెల పొయ్యి ముందు కూర్చున్న తల్లికి, రైస్ మిల్లు తవుడు దుమ్ములో, గుంటూరు మిర్చి ఘాటులో, పొగాకు బ్యారన్ వేడిలో ఊపిరితిత్తులు అరగదీసుకున్న కూలీకి మాత్రం ఏ కార్డూ ఈ మందు ఇవ్వదు. ఆదాయపు పన్ను కట్టే సీనియర్ సిటిజన్‌కు, బీమా లేకపోతే, మందుల ఖర్చు మీద పాత పన్ను విధానంలో 50,000 దాకా మినహాయింపు ఉంది. పన్ను కట్టేంత ఆదాయమే లేనివాళ్లకు ఏమీ లేదు.

అమెరికాలోని మన పిల్లల దగ్గరకు వెళ్లే తల్లిదండ్రులు సూట్‌కేసులో ఆరు నెలల ఇన్‌హేలర్లు సర్దుకుని వెళ్లడం మనకు తెలుసు. అక్కడ ధరలు అంత దారుణం. అక్కడి ప్రభుత్వం వృద్ధుల మందుల బీమాలో సొంత జేబు ఖర్చుకు 2025లో ఏడాదికి 2,000 డాలర్ల పరిమితి పెట్టింది. బేరమాడి ధర తగ్గించే మందుల జాబితాలో ట్రెలెజీ, బ్రియో ఇన్‌హేలర్లను చేర్చింది. ఆ కొత్త ధరలు 2027లో అమల్లోకి వస్తాయి. మన దగ్గర ధర అంత లేదు, కాబట్టి పని ఇంకా తేలిక.

ఇప్పటికే చేతిలో ఉన్న ఏర్పాట్లే చాలు. సాల్బుటమాల్, బుడెసొనైడ్-ఫార్మోటెరాల్ ఇన్‌హేలర్లు 2022 అత్యావశ్యక మందుల జాతీయ జాబితాలో ఉన్నాయి. జీఎస్టీ 12 నుంచి 5 శాతానికి దిగింది. జన ఔషధి జాబితాలోనూ ఇన్‌హేలర్లు ఉన్నాయి, అయితే అడిగిన రోజున షాపులో ఉండటమే సమస్య. 2023లో సవరించిన అసాంక్రమిక (ఒకరి నుంచి ఒకరికి అంటని) వ్యాధుల జాతీయ కార్యక్రమంలో ఉబ్బసం, సీఓపీడీలను చేర్చారు. బీపీ, షుగర్ మాత్రలు ఇస్తున్న అదే ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో, అదే రోజున, అదే రిజిస్టర్‌లో ఇన్‌హేలర్ కూడా ఇవ్వాలి. వయ వందన కార్డుకు జన ఔషధి షాపుల్లో నెలకు ఒక ఇన్‌హేలర్ తీసుకునే వీలు కల్పించాలి. దుర్వినియోగం అవుతుందన్న భయం ఉంటే, ఊపిరి ఊది కొలిచే స్పైరోమెట్రీ పరీక్షలో జబ్బు తేలినవాళ్లకే మొదట ఇవ్వండి. అందుకు జిల్లా, ఏరియా ఆస్పత్రుల్లో ఆ యంత్రం పనిచేసే స్థితిలో ఉండాలి.

మందు ఇస్తే సరిపోదు, పీల్చడం నేర్పాలి. కీళ్లవాతంతో వేళ్లు వంకరపోయిన చేతులకు డబ్బా నొక్కడమే కష్టం. నొక్కడం, పీల్చడం ఒకేసారి కుదరక మందంతా గొంతులోనే ఆగిపోతుంది. స్పేసర్ పెడితే ఆ ఇబ్బంది చాలావరకు తీరుతుంది. తర్వాత నోరు పుక్కిలించకపోతే నోటిపూత వస్తుంది, దానికి భయపడి మందే మానేస్తారు. నర్సు పది నిమిషాలు కూర్చుని చూపిస్తే తప్పే ఇబ్బంది ఇది. ఆశా కార్యకర్త ఇంటికి వెళ్లినప్పుడు ‘ఏదీ అమ్మా, ఒకసారి పీల్చి చూపించు’ అంటే చాలు.

బడ్జెట్ వరకూ ఆగకుండా ఇప్పుడే చేయగలిగింది కూడా ఒకటి ఉంది. ఆయాసంతో చేరిన పెద్దవాళ్లను ఏ పథకం కిందైనా డిశ్చార్జి చేసేటప్పుడు, చేతిలో చీటీ ఒక్కటే పెట్టి పంపొద్దు. స్పేసర్‌తో సహా ఇన్‌హేలర్ ఇచ్చి, నర్సు ముందు ఒకసారి పీల్పించి, డిశ్చార్జి పత్రంపై ఆ సంగతి రాయాలి. అలా రాస్తేనే ఆస్పత్రికి ప్యాకేజీ సొమ్ము విడుదల చేస్తామని రెండు రాష్ట్రాల ఆరోగ్య ట్రస్టులు ఒక సర్క్యులర్ ఇవ్వాలి. ప్రస్తుతం ఉన్న 15 రోజుల మందుల గడువును ఈ జబ్బులకు 90 రోజులకు పెంచాలని కేంద్రాన్ని కోరాలి. ఈ చలికాలం లోపే.