ముప్పావలా వడ్డీకి ఇరవై ఏళ్లు

గోదావరి డెల్టాలో వడ్డీని నూటికి నెలకు ఇన్ని రూపాయలని చెప్పుకుంటారు. రెండు రూపాయల వడ్డీ అంటే ఏడాదికి 24 శాతం, రూపాయి వడ్డీ అంటే 12 శాతం. ఆ లెక్కన 9 శాతం గృహరుణం ముప్పావలా (75 పైసల) వడ్డీ. పాలకొల్లులోనో అమలాపురంలోనో ప్రామిసరీ నోటు మీద అప్పు తెచ్చుకునే అలవాటున్న కుటుంబానికి ఇది చాలా చవకైన డబ్బు. అయితే నోటు బాకీ పంట చేతికొస్తే తీరిపోయేది, లేదంటే మూడేళ్లు నిండకుండా నోటు తిరగరాసేది. సొసైటీ పంటరుణం ఏడాదికోసారి కట్టి మళ్లీ తెచ్చుకునేది. ఇరవై ఏళ్లపాటు నెలనెలా నడిచే అప్పు మన రైతు కుటుంబాల అనుభవంలో లేదు. రేటు చూసి బాకీ బరువు అంచనా వేసే అలవాటు ఇక్కడ దారి తప్పిస్తుంది. ఇంటి అప్పును మోయలేనిదిగా చేసేది ముఖ్యంగా కాలం.

25 లక్షల రుణం, 9 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు తీసుకుందాం. ఈఎంఐ 22,493 రూపాయలు. మొదటి నెల కట్టిన దాంట్లో 18,750 వడ్డీకే పోతుంది, అసలుకు జమయ్యేది 3,743. అయిదేళ్లు ఒక్క నెల తప్పకుండా కడితే బ్యాంకుకు చేరేది సుమారు 13.5 లక్షలు, అసలులో తగ్గేది 2.82 లక్షలు. పదేళ్లకు దాదాపు 27 లక్షలు కట్టేస్తాం, అంటే తెచ్చుకున్న దానికంటే ఎక్కువ. అయినా ఇంకా 17.76 లక్షలు బాకీ ఉంటాం. అసలు సగానికి దిగేసరికి పద్నాలుగేళ్లు పడుతుంది. చివరికి కట్టే మొత్తం దాదాపు 54 లక్షలు. ఇందులో మోసం ఏమీ లేదు. ప్రతి నెలా మిగిలిన అసలు మీదే వడ్డీ వేస్తారు. మొదట్లో అసలు పెద్దది కాబట్టి వడ్డీ పెద్దది, ఈఎంఐ మాత్రం మారదు కాబట్టి అసలుకు మిగిలేది చిన్నది. అప్పు తీసుకున్న అయిదేళ్లకు ఇల్లు అమ్ముకోవాల్సి వచ్చినవాళ్లు, ఇన్నాళ్లు కట్టినా బాకీ కదల్లేదేమిటని బ్రాంచిలో గొడవ పడేది ఈ లెక్క ముందే ఎవరూ విప్పి చెప్పకపోవడం వల్లే.

గడువు మారిస్తే ఏమవుతుందో చూడండి. అదే రుణానికి 30 ఏళ్ల గడువు పెట్టుకుంటే ఈఎంఐ 20,116కు దిగుతుంది. నెలకు 2,377 రూపాయలు మిగిలినట్టే ఉంటుంది, కానీ మొత్తం వడ్డీ 29 లక్షల నుంచి 47.4 లక్షలకు పోతుంది. 15 ఏళ్లకు పెట్టుకుంటే ఈఎంఐ 25,357, వడ్డీ 20.6 లక్షలు. నెలకు 2,864 అదనంగా కట్టగలిగితే ఎనిమిది లక్షల పైచిలుకు ఇంట్లో మిగులుతుంది. గడువు పెంచి అర్హత చూపించడం రుణం అమ్మేవారికి తేలిక. ‘ఈఎంఐ ఎంత పడుతుంది?’ అని మాత్రమే అడిగేవారికి ఆ ఒక్క జవాబే దొరుకుతుంది. ‘మొత్తం ఎంత కడతాను?’ అని అడగడం అవసరం.

దీనికో ఎదురు వాదన ఉంది, అందులో న్యాయమూ ఉంది. రూపాయి విలువ ఏటా తగ్గుతుంది, పద్దెనిమిదో ఏట కట్టే 22 వేలు ఇవాళ్టి 22 వేలంత బరువుండవు. పైగా అద్దె తప్పుతుంది. డీఏ (కరువు భత్యం) పెరిగే ఉద్యోగికి ఇది వర్తిస్తుంది. కానీ ధాన్యం ధర, రొయ్య కౌంటు (కిలోకు ఎన్ని తూగితే అంత) ధర, కొబ్బరికాయ ధర మీద బతికే ఇంటికి ఆదాయం ఏటా మెట్టుమెట్టుగా పెరుగుతుందన్న హామీ లేదు. ఉద్యోగికైనా వయసు లెక్క చూసుకోక తప్పదు. రాష్ట్ర ప్రభుత్వోద్యోగి 42 ఏళ్ల వయసులో 20 ఏళ్ల రుణం తీసుకుంటే, అది 62వ ఏట పదవీ విరమణతో పాటు ముగియాలి. గడువు జరిగితే పింఛనులోంచి కట్టాలి.

గడువు జరగడం మాటవరసకు అన్నది కాదు. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ (మారే వడ్డీ) గృహరుణాలు రెపో (రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు) వంటి బయటి కొలమానానికి ముడిపడ్డాయి, కనీసం మూడు నెలలకోసారి రేటు సవరించాలి. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రిజర్వ్ బ్యాంకు రెపోను 4 నుంచి 6.5 శాతానికి పెంచింది. అంతకు కొద్ది నెలల ముందు 7 శాతానికి 20 ఏళ్ల మీద 25 లక్షలు తీసుకున్న వారి ఈఎంఐ 19,382. రేటు 9 శాతానికి చేరాక నెల వడ్డీయే 18,750. ఈఎంఐ మార్చకుండా అలాగే వదిలేస్తే అప్పు తీరడానికి సుమారు 38 ఏళ్లు పడుతుంది. 9.5 శాతమైతే నెల వడ్డీ 19,791. కట్టే డబ్బు వడ్డీకే చాలదు, బాకీ పెరుగుతూ పోతుంది. ఈ పరిస్థితి రాకూడదనే 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంకు ఆదేశాలిచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కలిపా, కొంత ముందుగా కట్టేస్తారా అని రుణగ్రహీతను అడగాలి. ఎన్ని వాయిదాలు మిగిలాయో, ఇప్పటిదాకా అసలు ఎంత, వడ్డీ ఎంత వసూలైందో మూడు నెలలకోసారి స్టేట్‌మెంటులో చూపాలి. గడువు పెంచినట్టు వచ్చే ఎస్సెమ్మెస్‌ను చూడకుండా తీసేసేవాళ్లే మనలో ఎక్కువ. అది వచ్చిన వారంలోనే బ్రాంచికి వెళ్లి ఈఎంఐ పెంచమని రాసివ్వడం లక్షల విలువ చేసే పని.

2025 ఫిబ్రవరి నుంచి జూన్ దాకా మూడు విడతల్లో రెపో ఒక శాతం తగ్గింది. అప్పుడు చేయాల్సింది దీనికి తిరగేసి: ఈఎంఐ తగ్గించుకోకుండా గడువును తగ్గనివ్వాలి. తగ్గుదల మన ఖాతాకు చేరిందో లేదో చూసుకోవాలి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల రుణాలు, పాత ఎంసీఎల్ఆర్ (బ్యాంకు తన ఖర్చుల లెక్కన నిర్ణయించే రేటు) రుణాలు రెపో వెంట వెంటనే కదలవు. అదే సంస్థ కొత్తవారికి అర శాతం తక్కువకు ఇస్తుంటే పాతవారు మార్పిడి రుసుము కట్టి ఆ రేటు అడగవచ్చు. పై ఉదాహరణలో అయిదేళ్ల తర్వాత రేటు 9 నుంచి 8.5కు తగ్గి, ఈఎంఐ మారకపోతే పది వాయిదాలు తగ్గుతాయి. ఆ సొమ్ము రెండుంపావు లక్షలు.

ఇక వడ్డీ పట్టికలో కనిపించని ఖర్చులు. 30 లక్షల ఫ్లాటు కొంటే ఆంధ్రప్రదేశ్‌లో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుము కలిపి 7.5 శాతం, అంటే 2.25 లక్షలు. దీనికి సాధారణంగా బ్యాంకు అప్పివ్వదు. మార్జిన్ సొమ్ముతో (ఇంటి ధరలో మన వాటాతో) పాటు అదీ చేతిలో ఉండాలి. లీగల్ ఒపీనియన్, వాల్యుయేషన్, ప్రాసెసింగ్ రుసుము, టైటిల్ డీడ్ల డిపాజిట్ పత్రం ఖర్చు వేరు. వీటికంటే జాగ్రత్తగా చూడాల్సింది రుణంలోనే కలిపేసే బీమా ప్రీమియం. 75 వేల ఏకమొత్త ప్రీమియాన్ని రుణానికి కలిపితే 20 ఏళ్లలో దానికి మనం కట్టేది 1.62 లక్షలు. పైగా ఆ కవరేజీ మొదటి రోజు పట్టిక ప్రకారం తగ్గుతూ వస్తుంది. రేటు పెరిగి గడువు జరిగితే చివరి ఏళ్లలో అప్పు ఉంటుంది, బీమా ఉండదు. అప్పు తీసుకునేవారికి జీవిత బీమా ఉండాల్సిందే. విడిగా టర్మ్ పాలసీ తీసుకుని రెండు ధరలూ పోల్చి చూడండి. ఇంటికీ బీమా కావాలి, తిరిగి కట్టడానికయ్యే విలువకు కావాలి. 1996 నవంబరు 6 నాటి తుపాను కోనసీమను ఏం చేసిందో ఇక్కడివారికి వేరే చెప్పాలా?

స్థలం ఉండి ఇల్లు కట్టుకునేవారికి డెల్టాలో మరో చిక్కు. పల్లపు స్థలానికి మెరక వేయాలి. నల్ల బంకమట్టి తడికి ఉబ్బి ఎండకు బీటలిస్తుంది కాబట్టి పునాది లోతుకు, ఇనుముకు ఖర్చెక్కువ. ఈ రెండింటినీ తక్కువ చూపిన ఎస్టిమేటుతో రుణం మంజూరు చేయించుకుంటే డబ్బు శ్లాబు దాటాక అయిపోతుంది. బ్యాంకు పని పూర్తయిన దశను బట్టే విడుదల చేస్తుంది. తలుపులు, కరెంటు, ప్లాస్టరింగ్‌కు ఇంట్లో ఉన్నదంతా ఊడ్చి, బంగారం తాకట్టు పెట్టి, చివరికి నాలుగు లక్షలు రెండు రూపాయల వడ్డీకి తెస్తారు. దాని వడ్డీ నెలకు ఎనిమిది వేలు. 25 లక్షల అప్పు ఈఎంఐలో మూడోవంతు కంటే ఎక్కువ, అసలు పైసా తగ్గదు. మెరక, పునాది లెక్క ముందే వేయించి, ఎస్టిమేటు మీద పదోవంతు అదనంగా చేతిలో పెట్టుకునే మొదలుపెట్టాలి. నిర్మాణ కాలంలో కట్టే ప్రీ-ఈఎంఐ వట్టి వడ్డీ. ఏడాదిలో కట్టే ఇంటికి సగటున సగం రుణం విడుదలై ఉంటే అది లక్షా పన్నెండు వేలు, ఆ ఏడాది అద్దెకు అదనం. పని ఆగితే వడ్డీ ఆగదు.

ఇంత ఖర్చు ఉన్నా డెల్టా కుటుంబాలకు జీతగాళ్లకు లేని ఒక వెసులుబాటు ఉంది. ఇక్కడ డబ్బు దఫాలుగా, పెద్ద మొత్తాల్లో వస్తుంది: సార్వా (ఖరీఫ్) ధాన్యం డబ్బు సంక్రాంతి చుట్టూ, దాళ్వా (రబీ) డబ్బు వేసవిలో, కొబ్బరి దింపులకు, రొయ్యల పట్టుబడికి, గల్ఫ్ నుంచి ఇంటివాళ్లు పంపినప్పుడు. వ్యక్తులు ఫ్లోటింగ్ రేటుకు తీసుకున్న గృహరుణంలో ముందుగా కట్టినందుకు జరిమానా వేయకూడదని 2012లోనే రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు చెప్పింది. ఈ వెసులుబాటును మన ప్రాంతం ఇంత తక్కువగా వాడుకోవడం బాధాకరం.

లెక్క ఇదీ. పై 25 లక్షల రుణంలో మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అసలుకు కట్టి ఈఎంఐ అలాగే ఉంచితే, 22 నెలలకు పైగా గడువు తగ్గి వడ్డీలో సుమారు 4.06 లక్షలు మిగులుతుంది. అదే లక్ష పదో ఏట చివర కడితే మిగిలేది 1.36 లక్షలు. ఏటా దాళ్వా డబ్బులోంచి 50 వేలు కడుతూపోతే 20 ఏళ్ల అప్పు 14 ఏళ్లు నిండకముందే తీరుతుంది, పది లక్షల వడ్డీ తప్పుతుంది. మొదటి అయిదారేళ్లు అందుకే విలువైనవి. గృహప్రవేశం అయ్యాక ఫర్నిచరుకు, కారుకు మళ్లే డబ్బు సరిగ్గా ఆ ఏళ్లలోనిదే.

కట్టే పద్ధతిలో పొరపాట్లు జరుగుతాయి. లోన్ ఖాతాలో ఊరికే డబ్బు వేస్తే కొన్నిచోట్ల అది రాబోయే ఈఎంఐల అడ్వాన్సుగా నిలిచిపోతుంది, అసలు తగ్గదు. ‘పార్ట్ పేమెంట్, ఈఎంఐ మార్చవద్దు, గడువు తగ్గించండి’ అని రాసిచ్చి, మర్నాడు కొత్త వాయిదాల పట్టిక తీసుకోవాలి. పట్టికలో మిగిలిన నెలల సంఖ్య తగ్గకపోతే పని జరగలేదన్నమాట.

ఎవరు కట్టకూడదో కూడా చెప్పాలి. రెండు రూపాయల వడ్డీ అప్పు నెత్తిన ఉండగా ముప్పావలా వడ్డీ అప్పు తీర్చడం తెలివి కాదు. ముందు నోటు బాకీ, తర్వాత తాకట్టు బంగారం, ఆ తర్వాతే ఇల్లు. ఆక్వా రైతు పట్టుబడి డబ్బంతా ఇంటి అప్పులో పోస్తే తర్వాతి పంటకు మేత అరువుకు తెచ్చుకోవాలి, ఆ అరువు ధరలో వడ్డీ దాగి ఉంటుంది. అలాంటివారికి ఓవర్‌డ్రాఫ్ట్ తరహా గృహరుణం నప్పుతుంది. పట్టుబడి డబ్బు ఆ ఖాతాలో ఉన్నన్నాళ్లూ వడ్డీ తగ్గుతుంది, సీడ్ (రొయ్య పిల్లలు) వేసే వేళకు తీసుకోవచ్చు. రేటు కాస్త ఎక్కువుంటుంది. ఏటా మూడు నాలుగు నెలలైనా పెద్ద మొత్తం నిల్వ ఉండేవారికే అది గిట్టుబాటు. ఆరు నెలల ఈఎంఐలకు సరిపడా సొమ్ము విడిగా పెట్టుకోవడం అందరికీ అవసరమే.

పన్ను మినహాయింపు కోసం అప్పు ఉంచుకోమనే సలహా ఇప్పటికీ వినిపిస్తోంది. సొంతానికి ఉండే ఇంటి వడ్డీపై రెండు లక్షల మినహాయింపు పాత పన్ను విధానంలోనే ఉంది, కొత్త విధానంలో లేదు. వ్యవసాయ ఆదాయానికి ఆదాయపు పన్నే లేనప్పుడు ఆ సలహా వ్యవసాయ ఆదాయం మీదే బతికే రైతుకు అసలే వర్తించదు.

బ్యాంకుల నుంచి మేము కోరేది కొత్త పథకాలు కాదు, ఉన్న నిబంధనల అమలు. 2024 అక్టోబరు 1 నుంచి ప్రతి రిటైల్ రుణానికీ ముఖ్య వివరాల పత్రం ఇవ్వాలి. రుసుములు, బీమా కలిపిన అసలైన వార్షిక వ్యయ రేటు, వాయిదాల పట్టిక అందులో ఉండాలి, అదీ రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో. డెల్టాలో ఆ భాష తెలుగు. సంతకాల కట్టలో పదిహేనో కాగితంగా ఇంగ్లిషు ప్రతి పెట్టడం అమలు కాదు. తెలుగు ప్రతి ఇంటికి తీసుకెళ్లి చదువుకోవడానికి వ్యవధి ఇవ్వాలి. అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లో ఒరిజినల్ దస్తావేజులు తిరిగివ్వాలని, బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు చెల్లించాలని మరో ఆదేశం ఉంది. ఆ సంగతి ప్రతి బ్రాంచి గోడ మీదా కనబడాలి.

తూర్పు, పశ్చిమ గోదావరి, కోనసీమ, కాకినాడ జిల్లాల్లో కలెక్టర్ల అధ్యక్షతన జరిగే బ్యాంకర్ల సంప్రదింపుల కమిటీ సమావేశాల్లో పంటరుణాల లక్ష్యాలు ఎలాగూ చర్చకు వస్తాయి. వచ్చే సమావేశపు ఎజెండాలో రెండంశాలు చేర్చాలి: గృహరుణాల్లో ఎన్నింటికి తెలుగు పత్రం ఇచ్చారో బ్రాంచిలవారీ లెక్క, సార్వా, దాళ్వా డబ్బు వచ్చే నెలల్లో పార్ట్ పేమెంటుకు ప్రతి బ్రాంచిలో ప్రత్యేక కౌంటరు.