మూడు విజిళ్ళు, యాభై లడ్డూలు

ముందే ఒప్పేసుకుంటున్నా. ఆ శనివారం రాత్రి మా ఇంట్లో పప్పు ఉడకకపోవడంలో తిరుపతి నీళ్ళ తప్పేమీ లేదు, కుక్కర్ గ్యాస్కెట్ తప్పు అసలే లేదు. తప్పంతా నాది. ఇంకా కచ్చితంగా చెప్పాలంటే నేను చదవకుండా నొక్కిన రెండు మీటలది.

పగలంతా ఇంట్లోనే ఆఫీసు పని చేసుకుని, రాత్రయితే నేను ట్విచ్‌లో, అంటే ఆట ఆడుతూ జనానికి లైవ్‌లో చూపించే సైట్‌లో, లారీ తోలుతుంటాను. యూరో ట్రక్ సిమ్యులేటర్ 2 అని 2012లో వచ్చిన ఆట. యుద్ధాల్లేవు, కాల్పుల్లేవు. జర్మనీలో సరుకు ఎక్కించుకుని, ట్రాఫిక్ రూల్స్ పాటిస్తూ ఫ్రాన్సుకి తీసుకుపోయి దించడమే. "దీన్ని గూడా చూసేవాళ్ళు ఉండారా?" అని మా పెదనాన్న ఓసారి నిజంగానే ఆశ్చర్యపోయి అడిగాడు. ఉంటారు. మామూలుగా పది పన్నెండు మంది. వాళ్ళలో సగం మంది చుట్టాలేనన్న సంగతి ఆయనకి చెప్పలేదు.

చూసేవాళ్ళ కోసం ట్విచ్‌లో చానెల్ పాయింట్స్ అని ఒక ఏర్పాటు ఉంది, 2019లో మొదలైంది. ఇవి డబ్బుతో కొనేవి కావు, కూర్చుంటే వచ్చేవి. అయిదు నిమిషాలు చూస్తే 10 పాయింట్లు, సుమారు పావుగంటకోసారి ఒక చిన్న పెట్టె బొమ్మ వస్తుంది, దాన్ని నొక్కితే ఇంకో 50. ఆ పాయింట్లకి చానెల్ నడిపేవాడు తనకిష్టమైన పేరు పెట్టుకోవచ్చు. ఊరు తిరుపతి అయ్యాక నేను ఇంకేం పెడతాను, లడ్డూలు అని పెట్టాను. అసలు లడ్డూకి 2009లోనే జీఐ గుర్తింపు, అంటే ఆ పేరు ఇంకెవరూ వాడుకోకూడదనే రక్షణ, వచ్చేసింది కదా, ఎందుకొచ్చిన గొడవ అని కింద 'ఇవి ఉత్తుత్తి లడ్డూలు' అని కూడా రాశాను.

కూడబెట్టిన లడ్డూలతో వాళ్ళు నా చేత ఏవేవో చేయించవచ్చు, వీటిని రివార్డులంటారు. నీళ్ళు తాగమనొచ్చు, హార్న్ కొట్టమనొచ్చు. చిత్తూరులో ఉండే మా మామ కొడుక్కి ఇవి చప్పగా అనిపించాయట. "బావా, కుక్కర్ విజిల్ పెట్టు. నువ్వు లారీ రివర్స్ తీస్తా ఉంటే మేము విజిల్ కొడతాం, భలే ఉంటాది" అన్నాడు. నాకూ నచ్చింది. ఇంటర్నెట్‌లో దొరికే విజిళ్ళు ఒక్కటీ మన కుక్కర్ విజిల్లా లేవు, అన్నీ రైలు కూతల్లా ఉన్నాయి. అందుకని ఒక పొద్దున అమ్మ అన్నం పెడుతుంటే స్టవ్ పక్కనే ఫోన్ పట్టుకుని నిలబడి మా కుక్కర్‌దే రికార్డు చేశాను. ముందు కాసేపు బుస, తర్వాత ఒక్కసారిగా ఎగిరే కూత, చివర్లో అలిగినట్టు మూలుగుతూ దిగడం. అచ్చం అదే. మా కుక్కరే మోసపోయేంత బాగా వచ్చింది. ధర 50 లడ్డూలు, అంటే పెట్టె ఒక్కసారి నొక్కితే వచ్చేవి.

ఇప్పుడు మొదటి మీట సంగతి. ఎవరైనా రివార్డు అడిగితే అది మామూలుగా మన దగ్గర వరుసలో వచ్చి నిలబడుతుంది. చేసిపెడితే పూర్తయిందని కొట్టాలి, కుదరకపోతే తిప్పి పంపాలి, తిప్పి పంపితే వాళ్ళ పాయింట్లు వాళ్ళకి వెనక్కి పోతాయి. చాలా న్యాయమైన పద్ధతి. అయితే రివార్డు తయారుచేసే ఫారం అడుగున 'స్కిప్ రివార్డ్ రిక్వెస్ట్స్ క్యూ' అని ఒక మీట పెట్టారు. దాన్ని పెట్టినవాళ్ళు తిరుపతి వాళ్ళయితే కారు. క్యూ లేకుండా పోవచ్చు అంటే ఈ ఊళ్ళో వద్దనేవాడు ఎవడైనా పుట్టాడా? విష్ణు నివాసం దగ్గర దర్శనం టోకెన్ కోసం చీకట్లో నిలబడినవాణ్ణి, వైకుంఠం కాంప్లెక్సులో తలుపు ఎప్పుడు తీస్తారా అని కటకటాలు పట్టుకుని కూర్చున్నవాణ్ణి, నన్ను పట్టుకుని క్యూ దాటేస్తావా అని అడిగితే చెయ్యి దానంతటదే పోయి నొక్కేసింది. అలా నొక్కితే ప్రతి కోరికా అడిగిన క్షణంలోనే పూర్తయినట్టు రాసేసుకుంటుందని, ఇక లడ్డూ వెనక్కి రాదని నాకు తర్వాత తెలిసింది. రెండు విజిళ్ళ మధ్య ఎంతసేపు ఆగాలి అనే గడి కూడా ఉంది. అది ఖాళీగా వదిలేశా.

ఆ శనివారం పలమనేరు నుంచి మా పెద్దమ్మా పెదనాన్నా వచ్చారు, మర్నాడు దర్శనానికి 300 రూపాయల టికెట్లున్నాయి. తిరుపతిలో ఇల్లున్నాక ఇది మామూలే, మా ఇంట్లో చాపలూ దిండ్లూ మనుషులకన్నా ఎక్కువ. పెద్దమ్మ సంచిడు టమోటాలు దించి, చీర కొంగు దోపుకుని, నేరుగా వంటింట్లోకి పోయింది. వంట చేసుకుంటూ అన్నమయ్య కీర్తనలు వినాలని నా గదిలోని చిన్న బ్లూటూత్ స్పీకర్ తీసుకుపోయి ఫ్రిజ్ మీద పెట్టింది. కాసేపటికి వచ్చి, "ఏందిరా ఇది, నా ఫోనుకి కలవనంటాది" అంది. "తర్వాత చూస్తాలే పెద్దమ్మా" అన్నాను. అప్పుడే లేచి చూసి ఉంటే ఇదంతా రాసే పని ఉండేది కాదు.

ఏడున్నరకి అమ్మ గోవిందరాజస్వామి గుడికి పోయింది. నేను తలుపేసుకుని, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని లారీ ఎక్కాను. "మిత్రులారా, ఈ రోజు నుంచి కుక్కర్ విజిల్" అని ప్రకటించాను. మా మామ కొడుకు వెంటనే నొక్కాడు. తెరమీద కుక్కర్ బొమ్మ వచ్చి ఊగింది. చప్పుడు లేదు.

"బావా, రాలేదు."

ఇంకొకాయన నొక్కాడు. నాకూ రాలేదు బ్రో అన్నాడు. మూడో ఆయన ఊరికే ఎందుకుండాలని ఆయనా నొక్కాడు. నేను లారీని రోడ్డు పక్కన పెట్టి రిపేరుకి దిగాను, ఆటలో కాదు, ఆట బయట.

ఈ విజిల్ వచ్చే దారి కొంచెం చుట్టుతిరుగుడు. అక్కడ ఎవరో లడ్డూలు ఖర్చుపెడితే ఆ కబురు ఒక వెబ్ పేజీకి అందుతుంది, ఆ పేజీ నా కంప్యూటర్లో ఓబీఎస్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్ లోపల కూర్చుని ఉంటుంది, అది బొమ్మ చూపించి శబ్దం వినిపించాలి, ఓబీఎస్ ఆ రెంటినీ ఆటతో కలిపి జనానికి పంపాలి. ఎక్కడైనా తెగొచ్చు. పేజీని రిఫ్రెష్ చేశాను. "ఇప్పుడు కొట్టండి" అన్నాను, కొట్టారు, లేదు. లాగౌట్ చేసి మళ్ళీ లాగిన్ అయ్యాను. "ఇప్పుడు?" లేదు. రివార్డు పేరులో అక్షరం తేడా ఉందేమోనని కళ్ళు దగ్గర పెట్టుకుని చూశాను, లేదు. ఆడియో మిక్సర్లో మాత్రం విజిల్ తాలూకు గీత ఎగిరి పడుతూనే ఉంది, అంటే మోగుతోంది, మరి ఎక్కడ మోగుతోంది? బలం చాలక పోలేదేమోనని వాల్యూమ్ చివరిదాకా తోశాను.

నేను ఇక్కడ వాల్యూమ్ తోస్తుంటే వంటింట్లో ఏం జరిగిందో పెదనాన్న తర్వాత పూసగుచ్చినట్టు చెప్పాడు. పెద్దమ్మ కందిపప్పూ టమోటాలూ కుక్కర్లో వేసి స్టవ్ వెలిగించి ఇటు తిరిగిందో లేదో విజిల్ వచ్చిందట. వెంటనే ఇంకోటి, ఇంకోటి. మూడు కాగానే ఆపేసింది. "వీళ్ళ కుక్కర్ జోరుగా ఉండాదే" అని మెచ్చుకుంది కూడా. మూత తీస్తే పప్పు వేసినట్టే ఉంది, గింజ గింజ లెక్కపెట్టుకోవచ్చు.

అక్కడ మొదలైంది చర్చ. ఈ ఊరి బోరు నీళ్ళు ఉప్పు నీళ్ళు, పప్పు చచ్చినా ఉడకదు, అదే మా పలమనేరులో అయితేనా అని పెద్దమ్మ. గ్యాస్కెట్ సాగిపోయింది, ఆవిరంతా బయటికి పోతోంది, అందుకే ఊరికే కూస్తోంది అని పెదనాన్న. ఆయన విద్యుత్ శాఖలో పనిచేసి రిటైరయ్యాడు, ప్రతిదీ లీకేజీయే ఆయనకి. టమోటా పులుపు ముందే వేస్తే పప్పు గట్టిగా ఉండిపోతుందని మళ్ళీ పెద్దమ్మే తన మీద తనకు అనుమానం తెచ్చుకుని, చిటికెడు సోడా వేసి రెండోసారి పెట్టింది. మంట అందుకునేలోపే నాలుగు విజిళ్ళు. ఈసారి ఇంకా గట్టిగా, ఎందుకంటే అప్పటికే వాల్యూమ్ తోసేశాను. ఆపింది, తీసింది. నీళ్ళు కూడా సరిగ్గా కాగలేదు.

మూడోసారి ఆమె చాలా పద్ధతిగా ఉంది. స్టవ్ ఆపేసి ఉంది. మూత ఎడమ చేతిలో ఉంది. పైనుండే విజిల్‌ని పీకి కడిగి, గట్టు మీద గుడ్డలో పెట్టింది. కుడి చేత్తో గరిటె పట్టుకుని పప్పులోకి వంగి చూస్తోంది. అప్పుడు నేను ఇవతల, "అందరూ ఒకేసారి కొట్టండి, చూద్దాం" అన్నాను.

గట్టు మీదున్న విజిల్ కూసింది.

"గోవిందా" అన్న కేక నాకు హెడ్‌ఫోన్స్‌లోంచి కూడా వినపడింది. గది తలుపు దభీమని తెరుచుకుంది. చేతిలో మూతతో, గరిటెతో పెద్దమ్మ. "ఒరే అబ్బోడా, లెయ్ ముందు! కుక్కర్లో ఏమో దూరింది. మంట లేదు, మూత లేదు, కూస్తా ఉండాది!"

నేను ఒక చెవి మీద హెడ్‌ఫోన్ తీశాను. వంటింట్లోంచి బ్రహ్మాండంగా విజిల్. అదే క్షణంలో తెరమీద మా మామ కొడుకు మెసేజ్: "బావా, వచ్చింది! ఏం చేసినావు?" ఏమీ చేయలేదు, తలుపు తెరుచుకుంది అంతే, వంటింటి కూత నా మైకులో పడింది. పని చేస్తోందన్న సంతోషంలో వాళ్ళు వరసగా ఇంకో ఆరు కొట్టారు. ఒక్కో కూతకీ పెద్దమ్మ ఒక్కో అడుగు నా వైపుకి జరిగి కెమెరా నిండా నిలబడింది. లారీ ఎవరికీ కనపడలేదు. అడిగినవాడూ లేడు.

అప్పుడు వెలిగింది నాకు. పోయిన వారం విజిల్ నాకు కూడా వినపడాలని ఓబీఎస్ సెట్టింగుల్లో ఏదో మార్చాను. అక్కడ మూడుంటాయి: మానిటర్ ఆఫ్, మానిటర్ ఓన్లీ, మానిటర్ అండ్ అవుట్‌పుట్. రెండోదాని పక్కన 'మ్యూట్ అవుట్‌పుట్' అని స్పష్టంగా రాసే ఉంది, అంటే నీకు మాత్రమే వినపడుతుంది, జనానికి పోదు అని. నేను దాన్నే నొక్కాను, ఇది రెండో మీట. ఇక నాకు వినపడే చోటుగా ఎంచుకున్నది ఆ బ్లూటూత్ స్పీకర్, అది ఇప్పుడు ఫ్రిజ్ మీద ఉంది. నా కంప్యూటర్‌ని పట్టుకుని వదలకపోబట్టే పెద్దమ్మ ఫోనుకి కలవనంది. చూసేవాళ్ళకి వినపడదు, నాకు వినపడదు, పప్పు వండే మనిషికి మాత్రం వినపడుతుంది. కావాలని చేద్దామన్నా ఇంత బాగా కుదరదు.

లెక్క చూస్తే 41 విజిళ్ళు, 2050 లడ్డూలు. కదలకుండా కూర్చుని ఒక్క పెట్టె కూడా వదలకుండా నొక్కినా గంటకి 320 వస్తాయి, అంటే ఒక మనిషి ఆరు గంటలకు పైగా నా లారీని చూసిన కష్టం. వెనక్కి ఇచ్చేద్దామంటే వరుసలో ఒక్కటీ లేదు, అన్నీ పూర్తయినట్టు రాసుంది. నిజానికి పూర్తయ్యాయి కూడా, వంటింట్లో.

పెద్దమ్మకి అంతా విడమరచి చెప్పాను. శ్రద్ధగా విని, "అయితే ఒక్కో విజిల్‌కి వాళ్ళు నీకు యాభై లడ్డూలిస్తారా?" అంది. నిజం లడ్డూలు కావు పెద్దమ్మా అన్నాను. "మరి దేనికి మోగించినారు?" అంది. దీనికి నా దగ్గర ఇప్పటికీ జవాబు లేదు. ఆ రాత్రి పప్పు గడియారం చూసి వండింది, సోడా ఎక్కువై పేస్టులా వచ్చింది, సంగటిలోకి ఊరిబిండితో సరిపెట్టుకున్నాం.

మర్నాడు సాయంత్రానికి కొండ దిగి వచ్చారు, నిజం లడ్డూలతో. స్నానాలయ్యాక పెద్దమ్మ పట్టుదలగా మళ్ళీ పప్పు పెట్టి, వచ్చి మా మధ్యన సోఫాలో కూర్చుంది. క్యూలో తన ముందున్న కడప ఆవిడ సంగతి మంచి పట్టులో చెబుతుండగా వంటింట్లో విజిల్ వచ్చింది. అమ్మ లేవబోయింది. "కూర్చో మే, వీడి జనం. పనీపాటా లేదు వాళ్ళకి" అని పెద్దమ్మ చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టింది. రెండోది. మూడోది. నాలుగోదానికి పెదనాన్న నా వైపు చూసి, "రెండొందల లడ్డూలు" అన్నాడు. నేను కూడా తల ఊపాను, నా కంప్యూటర్ పొద్దున్నుంచీ ఆపేసి ఉందన్న ఆలోచన వచ్చేసరికి మాడు వాసన హాల్లోకి వచ్చేసింది.