పేరుకే మందు

ఆదివారం పొద్దున హనుమకొండ, వరంగల్‌లలో చాలా ఇళ్లకు ఒక రంగుల కరపత్రం చేరింది. ‘మతిమరుపుకు విదేశీ మందు వచ్చేసింది’ అని పైన పెద్ద అక్షరాలు. మెడలో స్టెతస్కోప్‌తో ఒక మనిషి ఫోటో. దాని కింద, ఇంకా ప్రయోగాల్లోనే ఉన్న ఒక అల్జీమర్స్ మందు పేరు, ఆ పేరు పక్కన ‘ఫార్ములా’ అనే మాట, ఒక పొడి డబ్బా బొమ్మ. రెండు పూటలా పాలలో కలిపి తాగించాలట. ఆరు నెలల కోర్సుకు డబ్బు ఒకేసారి కడితే తగ్గింపు కూడా ఉందట.

దాచేదేమీ లేదు. ఆ కాగితం మా పత్రిక మడతలోనే పోయింది. ఏజెంట్లు పెట్టారు, మాకు తెలియదు అంటే చెల్లదు. పత్రికతో పాటు వచ్చింది కాబట్టే కొందరు దాన్ని నమ్మారు. సోమవారం నుంచి ఆఫీసుకు ఫోన్లు వస్తున్నాయి. పరకాల వైపు నుంచి మాట్లాడిన ఒకాయన, ‘మా బాపు నన్నే గుర్తు పడతలేడు సార్. మిర్చి పైసలు అచ్చినయ్, కొనమంటరా?’ అని అడిగారు. వద్దని చెప్పాం. ఫోన్ చేయకుండా నేరుగా డబ్బు కట్టేసినవాళ్లకు ఎవరు చెప్పాలి?

ఆ మందు పేరు ఇక్కడ మళ్లీ అచ్చు వేయం. అది వాళ్లకు ఇంకో ఉచిత ప్రకటన అవుతుంది. ‘నెమాబ్’ అని ముగుస్తుందని చెబితే చాలు, ఎందుకంటే గుట్టంతా ఆ తోకలోనే ఉంది.

కొత్త మందు ఏ దేశంలో తయారైనా, కంపెనీ బ్రాండు పేరు కాకుండా ప్రపంచమంతా వాడుకునే జెనెరిక్ పేరును ఖరారు చేసేది ప్రపంచ ఆరోగ్య సంస్థ. 1953లో తొలి జాబితా వచ్చింది. ఆ పేర్లకు ఒక వ్యాకరణం ఉంది. ‘మాబ్’ అంటే మోనోక్లోనల్ యాంటీబాడీ, అంటే ల్యాబ్‌లో ఒకే రకం కణాల నుంచి తీసిన ప్రతిరక్షక ప్రోటీన్. దాని ముందున్న ‘నె’ నాడీ వ్యవస్థకు గుర్తు. లెకనెమాబ్, డోనానెమాబ్, ట్రోంటినెమాబ్ అన్నీ ఈ వరసలోవే. ఇక ‘లెక’, ‘డోన’, ‘ట్రోంటి’ అనే మొదటి ముక్కలకు అర్థమే లేదు. ఉండకూడదనే అలా పెడతారు. జబ్బును గానీ, అది తగ్గుతుందన్న ఆశను గానీ రోగికి సూచించే పేరు వీలైనంతవరకు పెట్టకూడదన్నది ఆ సంస్థ నియమం. బలహీనుడైన మనిషి పేరు విని మోసపోకూడదని ఎప్పుడో ఆలోచించి రాసుకున్న నియమం అది. దాన్నే ఇక్కడ తలకిందులు చేసి, నోరు తిరగని పేరు కాబట్టి గొప్ప మందై ఉంటుందన్న భ్రమను అమ్ముతున్నారు.

ఇంకో సంగతి కరపత్రం చెప్పదు. ఈ పేరు పెట్టేది మందు పనిచేస్తుందని తేలాక కాదు, ప్రయోగాలు నడుస్తుండగానే. తొట్టెలలో వేసి పేరు పెట్టిన రోజే బిడ్డ సంపాదించి పెడుతుందని ఎవరమైనా అప్పు చేస్తామా? అల్జీమర్స్ కోసమే తయారైన బాపినూజుమాబ్ 2012లో, సోలానెజుమాబ్ 2016లో, గాంటెనెరుమాబ్ 2022లో పెద్ద ప్రయోగాల్లో విఫలమయ్యాయి. వాటి పేర్ల చివర కూడా మాబ్ ఉంది. అడుకానుమాబ్ కథ ఇంకా ఘోరం. సలహా కమిటీ వద్దన్నా అమెరికా మందుల నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ 2021 జూన్‌లో అనుమతి ఇచ్చింది. ముగ్గురు కమిటీ సభ్యులు రాజీనామా చేసి వెళ్లిపోయారు. మొదట్లో ఏడాదికి 56,000 డాలర్ల ధర పెట్టిన ఆ మందును 2024లో కంపెనీయే వదిలేసుకుంది. అంత పెద్ద వ్యవస్థలున్న చోటే పేరు ముందు పరుగెత్తి, రుజువు వెనకబడింది. ఇక్కడ అడిగేవాళ్లెవరు?

అసలు యాంటీబాడీ అంటే ప్రోటీన్. పాలలో కలిపి తాగిస్తే పప్పు, గుడ్డు అరిగినట్టే కడుపులో అరిగిపోతుంది. అందుకే వీటిని సెలైన్ ఎక్కించినట్టు నరంలోకి ఇస్తారు, లేదా చర్మం కింద ఇంజెక్షన్ చేస్తారు. చెంచాతో కలుపుకొని తాగే ‘మాబ్’ ఉండదు. డబ్బా మీద రాసుకున్న పేరే లోపల ఉన్నది ఆ మందు కాదని సాక్ష్యం చెబుతోంది. ఈ చిన్న విషయం కరపత్రం మీద ఫోటో వేయించుకున్న మనిషికి తెలియదా? తెలియకపోతే ఆయన డాక్టరు కాదు. తెలిసీ వేయించుకుని ఉంటే ఆ స్టెతస్కోప్ తీసి పక్కన పెట్టాలి.

జెనెరిక్ పేర్లకు కనీసం ఒక నియమం ఉంది. కంపెనీలు ముద్దుగా పెట్టుకునే పేర్లు చూడండి. 2008లో ‘రెంబర్’ అనే పేరు ప్రపంచమంతా మోగింది. ఇంగ్లిష్‌లో గుర్తుంచుకోవడం అనే మాటలోంచి కోసి తీసినట్టుండే పేరు. లోపల ఉన్నది మిథిలీన్ బ్లూ, ఎప్పటినుంచో ల్యాబుల్లో వాడుతున్న నీలిరంగు. దాన్ని మార్చి చేసిన తర్వాతి రూపం 2016లో ప్రధాన పరీక్షలో నెగ్గలేదు. అంతకు ముందు ‘అల్జెమెడ్’ వచ్చింది. జబ్బు పేరూ వైద్యం మాటా కలిపి కుట్టిన పేరు. 2007లో దాని ప్రయోగం విఫలమైంది. మరుసటి ఏడాది అదే పదార్థం ఇంకో పేరుతో, జ్ఞాపకశక్తి సప్లిమెంట్‌గా అమ్మకానికి వచ్చింది. పరీక్ష తప్పిన సరుకు పేరు మార్చుకుని దుకాణం ఎక్కింది. అప్పుడు గట్టిగా ఆపి ఉంటే, పరీక్షే రాయని సరుకు ఇవాళ మన గడపల్లోకి వచ్చేది కాదు.

ఈ మోసం ఎలా నడుస్తుందో మన రైతుకు ఎవరూ చెప్పక్కర్లేదు. పేరున్న పత్తి విత్తనం పేరులో ఒక అక్షరం మార్చి, ప్యాకెట్‌కు అదే రంగు వేసి అమ్మితే, చెట్టు ఏపుగా పెరిగి కాత లేక ఏడ్చిన చేలు ఎన్ని చూశాం! ఎనుమాముల మార్కెట్‌కు పత్తి బస్తాలతో రావాల్సినవాడు అప్పు పత్రంతో తిరిగాడు. అయినా రైతు మరుసటి వానాకాలం ఇంకో విత్తనం వేసుకుంటాడు. మతి తప్పుతున్న అవ్వకు ఆరు నెలలు పోతే ఆ ఆరు నెలలు మళ్లీ రావు. సరైన డాక్టరు దగ్గరికి పోయి, థైరాయిడ్, బీ12 లోపం లాంటి సరిచేయగల కారణాలు ఏమైనా ఉన్నాయా అని చూపించుకోవాల్సిన కాలం అది.

ఈసారి ఊరుకుంటే రేపు క్యాన్సర్ ‘మాబ్’ పేరుతో ఇంకో డబ్బా వస్తుంది. ఎల్లుండి కిడ్నీలకు, ఆ తర్వాత పక్షవాతానికి. ప్రయోగంలో ఉన్న పేరు ఎవరి సొత్తూ కాదన్నట్టు ఎవరికి దొరికింది వాళ్లు అతికించుకుంటారు. మా భయమంతా ఇదే.

మా తప్పు కరపత్రంతో ఆగలేదు. మన భాషలో ‘మందు’ చాలా విశాలమైన మాట. గోలీ మందే, పురుగుకు కొట్టేదీ మందే, పొలంలో చల్లే యూరియా కూడా మందే. ఆ అలవాటుతోనే ఇంకా పరీక్షల్లో ఉన్నదాన్ని కూడా మందు అనేస్తున్నాం. ‘అల్జీమర్స్‌కు మందు కనిపెట్టారు’ అని పత్రికలు, టీవీలు, మాతో సహా, ఎన్నిసార్లు శీర్షిక పెట్టలేదు? అది విఫలమైనప్పుడు లోపలి పేజీలో నాలుగు లైన్లు. దుబాయ్‌లోనో డాలస్‌లోనో ఉన్న కొడుకు ఆ మొదటి శీర్షికనే వాట్సాప్‌లో ఇంటికి పంపిస్తాడు. ఇక నుంచి ప్రయోగం ఏ దశలో ఉందో, ఎంతమంది మీద జరిగిందో మొదటి వాక్యంలో చెప్పకుండా మా పేజీల్లో అలాంటి వార్త రాదు. తనిఖీ చేయని వైద్య కరపత్రం మా మడతలో పోదు.

ఆశ మీదే బతుకుతున్న కుటుంబం నుంచి ఆ ఆశ కూడా లాక్కుంటారా అని కొందరు అడుగుతారు. వాళ్ల బాధ నిజమే. కానీ అనుమతి పొందిన మందు ఇచ్చే ఆశ కూడా ఎంతో ముందు తెలుసుకోవాలి. లెకనెమాబ్‌ను 1,795 మందిపై 18 నెలలు పరీక్షించారు. జబ్బు తీవ్రతను కొలిచే 18 పాయింట్ల కొలమానంపై, ఉత్తుత్తి మందు తీసుకున్నవాళ్లకూ వీళ్లకూ తేడా 0.45. జబ్బు ముదరడం కొంత నెమ్మదించిందే తప్ప పోయిన జ్ఞాపకం తిరిగి రాలేదు. మందు తీసుకున్నవాళ్లలో 12.6 శాతం మందికి స్కానింగ్‌లో మెదడు వాపు కనిపించింది. తొలి దశలో ఉన్నవాళ్లకే, అది కూడా పరీక్షలు చేసి, ఎమ్మారైలు తీస్తూ ఇవ్వాల్సిన మందు. ఇది అసలు సరుకు సంగతి. పాల పొడి ఏం చేస్తుందో మీరే ఆలోచించండి.

మన దేశంలో 60 ఏళ్లు దాటినవాళ్లలో 7.4 శాతం మందికి, అంటే దాదాపు 88 లక్షల మందికి డిమెన్షియా, అంటే మతి తప్పే జబ్బు, ఉందని జాతీయ సర్వే ఆధారంగా 2023లో వచ్చిన అంచనా. ‘ముసలితనం, చాదస్తం’ అని ఇన్నాళ్లూ వదిలేసిన ఇళ్లు ఇప్పుడిప్పుడే దాన్ని జబ్బుగా గుర్తిస్తున్నాయి. సరిగ్గా ఆ సమయంలోనే వాకిట్లోకి ఈ డబ్బాలు వచ్చాయి.

చట్టం లేక కాదు. మెదడు జబ్బులను నయం చేస్తామని ప్రకటనలు ఇవ్వడం 1954 నాటి డ్రగ్స్ అండ్ మ్యాజిక్ రెమెడీస్ చట్టం కింద నేరం. తొలిసారి నేరం రుజువైతే ఆరు నెలల దాకా జైలు వేయొచ్చు. రాష్ట్ర డ్రగ్స్ కంట్రోల్ అధికారులు ఈ చట్టం కింద దాడులు చేస్తున్న మాట నిజమే. మరి నాలుగు రోజులుగా పట్టపగలు చౌరస్తాలో కూడా పంచుతున్న కాగితం వాళ్ల కంట ఎందుకు పడలేదు? ఈసారి ఊరుకుంటే తర్వాతి వాడికి ధైర్యం ఇచ్చినట్టే.

వైద్య విద్య పెద్దలకు కూడా ఒక మాట. ప్రజల నోట ఉన్న భాషే భాష అని జీవితమంతా పోరాడిన కాళోజీ పేరు పెట్టుకున్న ఆరోగ్య విశ్వవిద్యాలయం ఈ ఊళ్లోనే ఉంది. ప్రయోగం అంటే ఏమిటి, అనుమతి అంటే ఏమిటి, ప్రయోగంలో చేరేవాళ్లు సంతకం చేసే ఒప్పుకోలు పత్రంలో ఏం ఉండాలి అన్నవి మన అవ్వకు, బాపుకు అర్థమయ్యే తెలుగులో రెండు పేజీలు రాసి ఎంజీఎం ఆసుపత్రి ఓపీ గోడకు అంటించడానికి ఎంత ఖర్చవుతుంది?

కరపత్రం వేసినవాళ్లను సూటిగా అడుగుతున్నాం. మన దేశంలో క్లినికల్ ప్రయోగం ఏదైనా 2009 జూన్ 15 నుంచి జాతీయ రిజిస్ట్రీలో తప్పనిసరిగా నమోదు కావాలి. మీ కాగితంలో ధర ఉంది, ఫోన్ నంబరు ఉంది, బ్యాంకు ఖాతా కూడా ఉంది. ఆ రిజిస్ట్రేషన్ నంబరు ఎక్కడ? ఉంటే రేపే పంపండి, ఇదే చోట అచ్చు వేస్తాం. లేకపోతే తీసుకున్న ప్రతి రూపాయీ ఆ ఇళ్లకు వెళ్లి తిరిగి ఇచ్చి రండి.