రిజిస్ట్రార్ ఆఫీసులో దండలు మార్చుకుంటే పెళ్లైపోదు

పెద్దలు కాదన్న పెళ్లి మన నవలల్లో ఎలా జరుగుతుందో గమనించండి. ఇద్దరూ ఇల్లు వదిలి హైదరాబాద్ బస్సెక్కుతారు, ఎంజీబీఎస్‌లో దిగుతారు, తర్వాతి పేజీలో రిజిస్ట్రార్ ఆఫీసులో సంతకాలు, దండలు. మతాలు వేరైనా ఇదే వరస. హక్కుల నవల అని మనం నెత్తిన పెట్టుకునే పుస్తకాల్లో కూడా ఇంతే. నాకు ఒళ్లు మండేది ఇక్కడే.

కులాలు వేరైనా ఇద్దరూ హిందువులైతే ఆర్యసమాజ్‌లో పెళ్లి చేసుకుని హిందూ వివాహ చట్టం కింద నమోదు చేయించుకోవచ్చు. మతాలు వేరై, ఎవరూ మతం మార్చుకోకూడదనుకుంటే మాత్రం చాలావరకు 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టమే దిక్కు. ఇద్దరిలో ఒకరైనా కనీసం 30 రోజులుగా ఉంటున్న జిల్లాలో ముందు నోటీసు ఇవ్వాలి. దాన్ని ఆఫీసులో అందరికీ కనబడేచోట అంటిస్తారు. నోటీసుల పుస్తకాన్ని ఎవరైనా వచ్చి ఉచితంగా చూడొచ్చు. అమ్మాయి శాశ్వత చిరునామా నల్లగొండ జిల్లాలో ఉందనుకోండి, ఒక కాపీ అక్కడి ఆఫీసుకూ వెళ్తుంది, అక్కడా అంటిస్తారు. ఎవరి కంటపడకూడదని ఊరు దాటి వచ్చిందో వాళ్ల ఊరికే ఆమె పేరు చేరుతుంది. 30 రోజులు గడిస్తేనే పెళ్లి, అదీ ముగ్గురు సాక్షుల ముందు. నోటీసిచ్చిన మూడు నెలల్లోపు జరక్కపోతే మళ్లీ మొదటికే.

ఆ నెల రోజులే అసలు కథ. పుట్టినతేదీకి రుజువుగా అడిగే పదో తరగతి మెమో ఇంట్లో బీరువాలో ఉంటుంది, తాళంచెవి అమ్మ కొంగున ఉంటుంది. ఆధార్‌కి లింకైన ఫోన్ నాన్నదైతే ఓటీపీ ఆయనకే పోతుంది. ఈలోపు ఊళ్లో మిస్సింగ్ కేసు పెడతారు. స్టేషన్‌కి పిలిపించి కౌన్సెలింగ్ పేరుతో గంటల తరబడి కూర్చోబెట్టి, చివరికి తల్లిదండ్రుల వెంట పంపేస్తారు. మేజరైన మనిషిని ఆమె ఇష్టానికి వ్యతిరేకంగా ఎవరికీ అప్పగించే అధికారం ఎస్సైకి లేదు. మేజిస్ట్రేట్ ముందు వాంగ్మూలం ఇస్తానని ఆమె పట్టుబట్టాలి. ఆ మాట అనొచ్చని ఆమెకు ఎవరు చెప్పారు? నవల చెప్పలేదు.

నోటీసు మీద అభ్యంతరం ఎవరైనా పెట్టొచ్చు, కానీ కారణాలు నాలుగే: వయసు, బతికున్న భార్య లేదా భర్త, మతిస్థిమితం, నిషిద్ధ బంధుత్వం. తండ్రికి ఇష్టం లేదన్నది అందులో లేదు. మేజర్ల పెళ్లికి కుటుంబం, కులం సమ్మతి అక్కర్లేదని 2018లో శక్తి వాహిని కేసులో సుప్రీంకోర్టు తేల్చింది, ఇలాంటి జంటల కోసం ప్రతి జిల్లాలో ప్రత్యేక సెల్, 24 గంటల హెల్ప్‌లైన్ పెట్టమంది.

సెక్షన్లు రాస్తే కథ పలచబడుతుందని అంటారు. నేనొప్పుకోను. ఇవన్నీ వదిలేస్తే దోషి తండ్రి ఒక్కడే అవుతాడు. పేరును గోడకెక్కించిన చట్టం, వాంగ్మూలం రాయించని పోలీసు, కాగితం లేదని తిప్పి పంపిన గుమాస్తా అందరూ తప్పుకుంటారు. 1986లో స్త్రీశక్తి సంఘటన అనే మహిళా బృందం తెచ్చిన ‘మనకు తెలియని మన చరిత్ర’ తీసి చూడండి. తెలంగాణ సాయుధ పోరాటంలో ఉన్న ఆడవాళ్లు, పోరాటం ఆగాక తమకేం జరిగిందో కూడా వాళ్ల నోటితోనే చెప్తారు. ఆ వివరమే మనల్ని నిలదీస్తుంది.

వెట్టి మీద నవలలదీ అదే తీరు, దొర గడీ కూలడంతో కథ ముగుస్తుంది. అడ్వాన్సు తీసుకుని ఒడిశా నుంచి వచ్చే కుటుంబాలు హైదరాబాద్ చుట్టూ ఇటుక బట్టీల్లో ఉన్నాయి. 1976 నాటి వెట్టిచాకిరీ నిర్మూలన చట్టం ప్రకారం ఆ అడ్వాన్సు వెట్టి అప్పు కాదని నిరూపించుకోవాల్సింది యజమాని. వెట్టి నుంచి విడుదలైనట్టు అధికారులిచ్చే రిలీజ్ సర్టిఫికెట్ చేతికివ్వకుండా రైలెక్కించి పంపేస్తే పునరావాసం సొమ్ము దగ్గర చిక్కొస్తుంది. ఈ కాగితం చుట్టూ ఒక్క నవల రాయండి, చదువుతాం.

బుక్ ఫెయిర్‌కి ఇలాంటి పుస్తకం వేస్తున్న ప్రచురణకర్తలకు ఒక మాట. అచ్చుకు ముందు ఆ అధ్యాయాన్ని ఒక లాయరు చేత చదివించండి. చివరి పేజీలో న్యాయ సేవల నంబరు 15100 వేయండి. ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరును ఇస్తారని దాని కింద పెద్దక్షరాల్లో రాయండి.