మెట్ల కింద చేరిన పదిహేడు అంగుళాల అల్లాయ్ చక్రాలకు

మహారాజశ్రీ పదిహేడు అంగుళాల అల్లాయ్ చక్రాలు నలుగురికి,

హనుమకొండ నుంచి మీ యజమాని అనేక నమస్కారాలతో రాయునది ఏమనగా, ఉభయకుశలోపరి. ఇక్కడ మేమందరమూ క్షేమం. మీ క్షేమం తెలుసుకోవాలంటే మెట్ల కిందికి కాస్త వంగి చూస్తే చాలు. నలుగురిలో ముగ్గురు ఇంకా గుండ్రంగానే ఉన్నారు. నాలుగో వారి అంచు ఒకచోట లోపలికి నొక్కుకుపోయింది. ఆ సంగతికి వస్తాను, తొందరేమీ లేదు. మీరెలాగూ ఎక్కడికీ వెళ్లేది లేదు.

మిమ్మల్ని తెచ్చుకోవాలని నేను ఇంట్లోంచి బయలుదేరలేదు. అయిదేళ్ల వయసున్న మా సెడాన్ టైర్లు అరిగిపోయాయి. టైరు గాడుల అడుగున చిన్న చిన్న రబ్బరు గట్లు ఉంటాయి. పైభాగం అరిగి వాటితో సమానమైతే ఇక మిగిలిన లోతు 1.6 మిల్లీమీటర్లేనని లెక్క. చట్టం కూడా అక్కడి వరకే ఒప్పుకుంటుంది. మావి ఆ గీతకు వచ్చేశాయి. ఉన్నవాటిలాంటివే నాలుగు కొని, అలైన్‌మెంట్ చేయించుకుని, మధ్యాహ్నం భోజనానికి ఇల్లు చేరాలనుకున్నాను. చేసిన తప్పల్లా వెంట మా అబ్బాయినీ బావమరిదినీ తీసుకెళ్లడమే. టైర్ల దుకాణానికైనా పెళ్లిచూపులకైనా ఎక్కువ మంది వెళితే ఖర్చు పెరుగుతుంది.

ఆ దుకాణంలో మిమ్మల్ని గోడకు తగిలించి, వెనక దీపాలు పెట్టిన తీరు చూస్తే చెప్పులు బయట విడిచి రావాలనిపించింది. మా అబ్బాయి వాకిట్లో నిలిపిన కారునూ మిమ్మల్నీ మార్చి మార్చి చూసి, "నాన్నా, మన కారు పెళ్లికి హవాయి చెప్పులతో వచ్చినట్టుంది" అన్నాడు. బావమరిది వంగి, మడ్‌గార్డుకూ టైరుకూ మధ్య చెయ్యి దూర్చి, "చూడు బావా, ఎంత ఖాళీయో" అన్నాడు. అయిదేళ్లలో ఒక్కసారి కూడా నా కంటపడని ఖాళీ అది. ఆ క్షణం నుంచి కారులో నాకు ఆ ఖాళీ తప్ప మరేమీ కనిపించలేదు.

దుకాణదారు మిమ్మల్ని కిందికి దింపి, "మీ బండికి సరిగ్గా సరిపోతాయి సార్" అన్నాడు. నాలుగు బోల్టులు నాలుగు రంధ్రాల్లో దూరడాన్ని వాళ్ల భాషలో సరిపోవడం అంటారని నాకు తర్వాత తెలిసింది. మధ్య రంధ్రం మా కారు హబ్బు, అంటే చక్రం వచ్చి కూర్చునే ఇరుసు మొన, కన్నా పెద్దది. ఆ సందు పూడ్చడానికి ఒక రింగు వేయాలి. అది వేయలేదు. 80 దాటితే స్టీరింగు వణికేది. ఖరీదైన చక్రాలు వేశాం కదా, కారుకు ఒళ్లు పులకరిస్తోందనుకున్నాను.

ఇక మీ ముక్కు మీద, అంటే టైరు పక్కన, రాసి ఉన్న అంకెల సంగతి. పాత టైరు మీద 185/65 ఆర్15 88హెచ్ అని ఉండేది. 185 అంటే టైరు వెడల్పు, మిల్లీమీటర్లలో. 65 మాత్రం మిల్లీమీటర్లు కాదు. ఆ వెడల్పులో నూటికి 65 వంతులు టైరు పక్కభాగం ఎత్తు అన్నమాట. 15 అంటే రిమ్ము, అంటే టైరు తొడిగే లోహపు చక్రం, వ్యాసం, అంగుళాల్లో. ఒకే వరుసలో మూడు రకాల కొలతలు. పొలాన్ని ఎకరాలు గుంటల్లో, ఇంటి స్థలాన్ని గజాల్లో, బంగారాన్ని తులాల్లో, రవిక గుడ్డను మీటర్లలో కొనే ఊరివాణ్ణి. నాకు ఇది తలనొప్పి కాకూడదు. అయినా ఆ ముక్కను నేను ఏనాడూ చదవలేదు. పైగా ఆర్ అంటే రేడియస్ అని పదిమందికి ధైర్యంగా చెప్పాను. అది రేడియల్. టైరు లోపలి దారాలు ఈ అంచు నుంచి ఆ అంచుకు బండి చక్రం ఆకుల్లా అడ్డంగా సాగుతాయని చెప్పే అక్షరం. మిషెలిన్ కంపెనీ 1946లో ఆ పద్ధతికి పేటెంటు తీసుకుంది. నేను పుట్టక ముందే తేలిపోయిన విషయాన్ని పట్టుకుని ఇన్నేళ్లు తప్పు చెబుతూ వచ్చాను.

లెక్క మూడో తరగతి పిల్లవాడు కూడా చేస్తాడు. 185లో 65 శాతం 120 మిల్లీమీటర్లు. రిమ్ముకు పైన ఒక 120, కింద ఒక 120. మధ్యలో 15 అంగుళాల రిమ్ము, అంటే 381. మొత్తం చక్రం ఎత్తు దాదాపు 621. మీకు తొడిగిన టైరు 205/40 ఆర్17. 205లో 40 శాతం 82. పైనా కిందా కలిపి 164. మీ పదిహేడు అంగుళాలు 432. మొత్తం 596. రిమ్ము రెండు అంగుళాలు పెరిగింది, చక్రం మొత్తం మీద ఒక అంగుళం తగ్గింది. రిమ్ము మార్చినా చక్రం మొత్తం ఎత్తు పాతదానికి మూడు శాతం లోపే అటూ ఇటూ ఉండాలంటారు ఈ పనిలో ఉన్నవాళ్లు. మాది నాలుగు దాటింది.

అన్నిటికన్నా వింత ఏమిటంటే, మిమ్మల్ని తెచ్చింది ఖాళీ పూడ్చడానికి. టైరు కురచ కావడంతో మడ్‌గార్డు కింద ఖాళీ 13 మిల్లీమీటర్లు పెరిగింది. కారు మాత్రం అంతే మేరకు నేలకు దిగింది. మా కాలనీలో స్పీడ్ బ్రేకర్లను ఎవరికి తోచిన ఎత్తులో వాళ్లు పోసుకున్నారు. ఒక్కొక్క దాని మీద కారు పొట్ట గీసుకుంటూ వెళ్లేది. మీ మెరుపు ముందు ఇవన్నీ ఎవరు గమనిస్తారు?

ఒక సంతోషం మాత్రం ఇచ్చారు, కాదనను. మీరు వచ్చిన నెలలో మైలేజీ పెరిగింది. ఆఫీసులో ఆ మాట చెప్పి మిర్చీ బజ్జీలు కూడా తెప్పించాను. చక్రం కురచదైతే అదే దూరానికి ఎక్కువ చుట్లు తిరగాలి, చుట్లను బట్టే మీటరు దూరం లెక్కిస్తుంది, కాబట్టి నడవని కిలోమీటర్లు కూడా నా ఖాతాలో పడ్డాయని మా అబ్బాయి చెప్పేసరికి బజ్జీలు అరిగిపోయాయి. 145 కిలోమీటర్లు వెళితే 151 చూపించేది. మీ పుణ్యాన హైదరాబాదు మాకు ఆరు కిలోమీటర్లు దూరం జరిగింది.

మిమ్మల్ని మొదటి రోజు నుంచీ అనుమానించింది మా అమ్మ ఒక్కతే. ముందు సీట్లో కూర్చుని, నయీంనగర్ దాటేలోపు, "కింద రూపాయి బిళ్ల పడినా అది బొమ్మో బొరుసో నా నడుముకు తెలుస్తోందిరా" అంది. రోడ్డు బాగాలేదమ్మా అన్నాను. అమ్మ పట్టించుకోలేదు. పాత టైరుకు 120 మిల్లీమీటర్ల రబ్బరు గోడ, దాని వెనక గాలి. గుంత తగిలితే మొదట వంగేది అదే. దాన్ని 82కు కోసి, మిగతా చోటులో లోహం నింపుకున్నాం. లోహం వంగదు. వంగినప్పుడు ఇక తిరిగి లేవదు.

ఇప్పుడు నాలుగో వారి సంగతి.

మనవడికి ఇంజనీరింగ్ సీటు వస్తే సమ్మక్క సారలమ్మలకు నిలువెత్తు బంగారం ఇస్తానని అమ్మ మొక్కుకుంది. మేడారంలో బంగారం అంటే బెల్లం అని ఈ ప్రాంతం వాళ్లకు చెప్పనక్కర్లేదు. మనవడు 58 కిలోలు తూగాడు. 2024 జాతరకు పదిరోజుల ముందు, రద్దీ పెరగకముందే మొక్కు తీర్చుకుందామని బయలుదేరాం. కారులో అయిదుగురం. డిక్కీలో 58 కిలోల బెల్లం, కొబ్బరికాయలు, బుట్టలో ఒక కోడి. పాత టైరు మీద 88 అంటే ఒక్కొక్కటి 560 కిలోలు మోయగలదని అర్థం. మీ టైరు మీద 84. అంటే 500. నాలుగింటికీ కలిపి 240 కిలోల భరోసా దుకాణంలోనే వదిలి వచ్చాం. ఆ 500 అయినా గాలి ఎక్కువగా కొట్టిస్తేనే. బంకులో అబ్బాయి ఎంత అని అడిగితే 33 అనడం నాకు అయిదేళ్ల అలవాటు. ఆ రోజూ 33 అన్నాను.

దారిలో గట్టమ్మ గుడి దగ్గర ఆగి కొబ్బరికాయ కొట్టాం. ములుగు దాటాం. గోవిందరావుపేట కూడా దాటి పస్రా వైపు వెళుతుండగా, ఎదురుగా లారీ వస్తే కాస్త ఎడమకు తప్పుకున్నాను. అక్కడ గుంత. పెద్దదేమీ కాదు, పాత టైర్లయితే ఒకసారి మూలిగి ఊరుకునేవి. ఢాం అన్న చప్పుడుకు మొదట కోడి అరిచింది, తర్వాత మా ఆవిడ. దిగి చూస్తే ముందు ఎడమవైపు మీ నాలుగో వారు. టైరు పక్కభాగం రిమ్ము అంచుకూ గుంత అంచుకూ మధ్య నలిగి జానెడు పొడవున చీలింది. రిమ్ము అంచు లోపలికి పోయింది.

స్టెప్నీ ఉంది. జాకీ ఉంది. పానా కూడా ఉంది. కానీ మీలాంటి అందగాళ్లను ఎవరైనా ఎత్తుకుపోతారన్న భయంతో దుకాణదారు చక్రానికొకటి చొప్పున తాళం నట్లు అంటగట్టాడు. వాటికి వేరే తాళంచెవి ఉంటుంది. "భద్రంగా దాచాను నాన్నా" అన్నాడు మా అబ్బాయి. ఎక్కడో మాత్రం గుర్తు రాలేదు. దొంగల నుంచి మిమ్మల్ని కాపాడిన ఆ నట్టు, సొంతదారుడి నుంచి కూడా అంతే నిష్ఠగా కాపాడింది. గంటన్నర తర్వాత ఒక లారీ డ్రైవరు ఆగాడు. కాస్త చిన్న సైజు సాకెట్టును ఆ నట్టు మీద సుత్తితో కొట్టి బిగించి, పొడవాటి పైపు తగిలించి ఊడబెరికాడు. డబ్బు ఇస్తే తీసుకోలేదు. డిక్కీ చూసి, ప్రసాదం ఇవ్వమన్నాడు.

స్టెప్నీ పాత పదిహేను అంగుళాలదే. ఎడమ కాలు 621, కుడి కాలు 596. మెల్లగా పస్రా వరకు వచ్చి పంచరు దుకాణం దగ్గర ఆగితే, అక్కడి మేస్త్రీ ముందు చక్రాలు రెండూ చూసి తల పట్టుకున్నాడు. ఇంజిను తిప్పేది ముందు చక్రాలనే, రెండూ రెండు సైజులైతే, మలుపుల్లో రెండు చక్రాలనూ వేర్వేరు వేగాలతో తిరగనిచ్చే డిఫరెన్షియల్ అనే గేర్ల పెట్టెకు తిన్నగా వెళ్లేటప్పుడు కూడా విశ్రాంతి ఉండదని చెప్పి, వెనక చక్రం తాళం నట్టుతోనూ అదే కుస్తీ పట్టి, వెనక ఎడమవైపు ఉన్న మీ తమ్ముణ్ణి ముందుకు తెచ్చి, స్టెప్నీని వెనక్కి వేశాడు. పని చేస్తూ ఒకే ఒక మాట అన్నాడు. "గిన్నె పెద్దది చేసి అన్నం తగ్గించారు సార్."

మేడారం చేరాం, మొక్కు తీరింది. తిరుగు దారిలో కారు ఒక పక్కకు ఒరిగి నడుస్తుంటే నాకు రామప్ప గుడి గుర్తొచ్చింది. ఆ గుడి ఉన్న పాలంపేట అక్కడికి ఎంతో దూరం కాదు. 1213 నాటి గుడి, 2021లో యునెస్కో జాబితాకు ఎక్కింది. అంత బరువైన రాతిగుడికి కింద ఇసుక పునాది వేశారు కాకతీయుల శిల్పులు. నేల కదిలితే ఆ ఇసుక సర్దుకుంటుందని. రాతికి కూడా కింద మెత్తదనం ఉండాలని ఎనిమిది వందల ఏళ్ల కిందట వాళ్లకు తెలిసిన జిల్లాలో పుట్టి, నేను మా అమ్మ నడుము కింద 38 మిల్లీమీటర్ల మెత్తదనం కోయించాను.

తప్పంతా మీదే అనడం అన్యాయం. 40కి బదులు 45 అడిగి ఉంటే, అంటే 205/45 ఆర్17, ఎత్తు 616 వచ్చేది. మీటరు దాదాపు నిజమే చెప్పేది. పదహారు అంగుళాలతో సరిపెట్టుకుని 195/55 వేయించి ఉంటే 621కి 621. అది మర్యాదస్థుల సైజు. పదిహేను వద్దనే పిల్లలున్న ఇంట్లో అక్కడితో రాజీ పడవచ్చు. మా అబ్బాయి ఇప్పుడు ఆ రాయబారమే నడుపుతున్నాడు. నేను ఇంకా ఒప్పుకోలేదు.

మీకు తెలియని అవమానం ఒకటి మిగిలింది. పాత ఇనుప రిమ్ములు నాలుగూ మిమ్మల్ని కొన్న రోజే పాత ఇనుము ధరకు ఇచ్చేశాను. మళ్లీ అలాంటివే నాలుగు కావాలని వెతికితే, ఇచ్చిన దానికి మూడింతలకు దొరికాయి. అల్లాయ్ అంటే తేలిక అని అందరూ అంటారు కదా అని, ఇంటికి తెచ్చాక మీలో ఒకరినీ వాటిలో ఒకదాన్నీ కాటా మీద పెట్టించాను. మీరు రెండు కిలోలు ఎక్కువ తూగారు. కొత్త టైర్లు తొడిగించాక డ్రైవరు తలుపు తీసినప్పుడు, తలుపు చట్రానికి అంటించిన కాగితం మీద మొదటిసారి చూపు పడింది. టైరు సైజు, ముందు ఎంత గాలి, వెనక ఎంత గాలి, నిండుగా మనుషులుంటే ఎంత. అన్నీ అచ్చులో ఉన్నాయి. అయిదేళ్లుగా రోజుకు నాలుగుసార్లు ఆ తలుపు తీస్తున్నాను.

అమ్మ మళ్లీ ముందు సీట్లో నిద్రపోతోంది. మీలో ఒకరి మీద తులసికుండీ పెడదామని మా ఆవిడ అంటోంది. ఆ గౌరవం ఎవరికి దక్కాలో మీలో మీరే తేల్చుకోండి. వంకరవారికి అవకాశం లేదు, కుండీ ఒరుగుతుంది.

ఇట్లు,
మీ యజమాని

తాజా కలం: తాళం నట్ల తాళంచెవి నిన్న దొరికింది. కారులోనే ఉంది, ముందు అరలో, బీమా కాగితాల కింద. మేడారం వరకు మాతోనే వచ్చి, మాతోనే తిరిగి వచ్చింది.